ఇడియోపతిక్ అని రాసే ముందు

ఉద్యోగ విరమణకు నాలుగేళ్ల ముందు, ఒక జూన్ నెలలో, నన్ను ఊపిరితిత్తుల విభాగం ప్రొఫెసర్‌గా వరంగల్‌కు బదిలీ చేశారు. సొంత ఊరికి పోస్టింగ్ దొరికిందని బంధువులు సంబరపడ్డారు. మాది హనుమకొండ. మా నాన్నకు బజారులో బట్టల దుకాణం ఉండేది, అందులో ఒక గోడ పొడవునా వరంగల్‌లోని నేతగాళ్ల పేట కొత్తవాడ నుంచి వచ్చిన జంపఖానాలు పేర్చి ఉండేవి. చిన్నప్పుడు వాటి మీదెక్కి దూకి తన్నులు తిన్నాను. అవి నేసే ఇళ్లలోకి మాత్రం డాక్టరునై తల నెరిసేదాకా అడుగు పెట్టలేదు.

ఇదంతా ఇప్పుడు రాయడానికి కారణం మా కాలనీలో ఒకాయన. తన వదినగారి రిపోర్టు తెచ్చి, అందులో ఒక మాట కింద వేలు పెట్టి, దీని అర్థమేమిటని అడిగారు. ఆ మాట ఇడియోపతిక్. రెండు ముక్కల్లో చెప్పి పంపేశాను గానీ, ఆ మాట నన్ను అంత తేలిగ్గా వదిలేది కాదు.

అది గ్రీకు నుంచి వచ్చిన విశేషణం. ముందు సగానికి తనదైన అనీ, వెనక సగానికి బాధ అనీ అర్థం. మరో జబ్బు వల్ల కాక, తనంత తానుగా పుట్టిన బాధ అన్నది పాత వాడుక. ఇప్పటి వాడుకలో, వెతకవలసినవన్నీ వెతికినా కారణం దొరకని జబ్బు అని. కారణం లేనిది అని కాదు. లేకపోవడానికీ తెలియకపోవడానికీ మధ్య ఎంత దూరముందో పీజీలకు చెప్పీ చెప్పీ నా గొంతు పోయింది. దీనికి వరసైన మాటలు ఇంకా ఉన్నాయి. క్రిప్టోజెనిక్ అంటే పుట్టుక దాగి ఉన్నది. రక్తపోటుకు తగిలించే ఎసెన్షియల్ అనేది మరీ పొగరుబోతు మాట, తెలియదని ఒప్పుకోవడానికి కూడా దానికి మనసొప్పదు. వీటితో పోలిస్తే ఇడియోపతిక్ నిజాయితీ గలదే. కాలం గడిచేకొద్దీ చిక్కిపోయే మాట కూడా, ఎందుకంటే కారణం దొరికిన ప్రతి జబ్బూ దాని కింద నుంచి బయటికి వెళ్లిపోతుంది.

పుస్తకాల్లో లేని మూడో వాడుక ఒకటి వార్డుల్లో ఉంది. వెతకడం మానేశాం అని.

అందుకే మా విభాగంలో ఒక కట్టుబాటు పెట్టాను. ఊపిరితిత్తి గట్టిపడిపోయే జబ్బుకు, దాన్ని ఫైబ్రోసిస్ అంటాం, ఆ విశేషణం తగిలించాలంటే ఒక్కరు రాస్తే చెల్లదు. రోగిని చూసే డాక్టరు, సీటీ స్కాన్ చదివే రేడియాలజిస్టు, ముక్క పరీక్ష చూసే పెథాలజిస్టు, ముగ్గురూ ఒక బల్ల దగ్గర కూర్చుని ఒప్పుకుంటేనే రాయాలి. పేరు కోసం పెట్టిన పట్టుదల కాదిది. ఇడియోపతిక్ అయితే జబ్బు ఆగదు, మందులతో కాస్త నెమ్మదిస్తుందంతే. పీల్చే గాలిలో ఏదో పడక వచ్చిన ఫైబ్రోసిస్ అయితే, ఆ పడనిదాన్ని తొందరగా దూరం చేస్తే జబ్బు ఉన్నచోటే ఆగే అవకాశం ఉంటుంది. ఆ ఒక్క మాట మీద మనిషి ఆయుష్షు ఆధారపడుతుంది.

సులోచన ఆ మాటతోనే మా దగ్గరికి వచ్చింది. యాభై దాటని మనిషి, కొత్తవాడ. ఏదో ప్రైవేటు ఆసుపత్రిలో చూపించుకుంటే ఫైలు మీద అలా రాసి పంపారు. వెంట వచ్చిన భర్త సాంబయ్య జంపఖానాలు నేస్తాడు. ఎందుకొచ్చిందో ఎవరికీ తెల్వదట మేడం అని, అదేదో గొప్ప జబ్బయినట్టు చెప్పాడు. ఆమె నాలుగడుగులు వేసి ఆగి, గోడ పట్టుకుని, నవ్వింది. గోళ్లు గుండ్రంగా ఉబ్బి ఉన్నాయి. వీపు మీద స్టెతస్కోపు పెడితే, చెవి పక్కన వెంట్రుకలు నలిపినట్టు చప్పుడు.

కేస్ షీటులో వృత్తి అన్నచోట గృహిణి అని ఉంది. ప్రైవేటులో అదే రాశారు, మా హౌస్ సర్జన్ అదే రాశాడు, పీజీ అదే దించాడు, అసిస్టెంటు ప్రొఫెసర్ దాని పక్కన టిక్కు పెట్టాడు. తిలాపాపం తలా పిడికెడు. ఇంట్లో పావురాలున్నాయా, కోళ్లున్నాయా, కూలర్ ఉందా, కట్టెల పొయ్యా అని వరసగా అడిగాం. అన్నిటికీ లేదు అనే జవాబు. పని ఏమైనా చేస్తుందా అని భర్తను విడిగా కూడా అడిగాను. "ఆమె ఏం పని చేయది మేడం, ఇంట్లనే ఉంటది" అన్నాడు సాంబయ్య.

వార్డులో చేర్చుకున్నాం. పెద్ద మందులేవీ మొదలుపెట్టకముందే ఆమె తేరుకుంది. వేలికి క్లిప్పు పెట్టి, ఆరు నిమిషాలు వరండాలో నడిపించి, రక్తంలో ఆక్సిజన్ ఎంత పడిపోతుందో చూసే పరీక్ష ఒకటుంది. చేరినప్పుడు సగంలో ఆగిపోయిన మనిషి, వెళ్లేనాటికి పూర్తిగా నడిచింది. ఇంటికి పంపితే కొన్నాళ్లకే మళ్లీ ఆయాసంతో వచ్చింది. రెండోసారీ అదే తంతు. "దవాఖానల పంటే పానం మంచిగైతాంది డాక్టరమ్మా, ఇంటికి పోతే మల్ల గుంజుతాంది" అని తనే చెప్పింది. స్కాన్ చూసిన రేడియాలజిస్టు కూడా ఇది ఇడియోపతిక్ వాలకం కాదు, ఏదో పీలుస్తోంది, కనుక్కోండి అని మొండికేశాడు.

రెండోసారి డిశ్చార్జి చేసేటప్పుడు సాంబయ్య తొందరపెట్టాడు. ఎందుకా తొందరని విసుక్కున్నాను.

"మగ్గం ఆగింది మేడం. కండెలు చుట్టెటోళ్లు లేరు."

కండెలు ఎవరు చుడతారని అడిగాను.

"ఇంకెవలు, ఈమెనే. పొద్దుగాల లేస్తే పొద్దుమీకే దాంక గదే గద."

పని చేయదన్నావు కదయ్యా అని నేను కేక వేసినట్టున్నాను, పక్క మంచాలవాళ్లు లేచి కూర్చున్నారు. ఆయన బిత్తరపోయాడు. "గదేం పని మేడం? మగ్గం మీద కూసునేది నేను గద" అన్నాడు. సులోచన కూడా తల ఊపింది. వాళ్లు అబద్ధం ఆడలేదు. ఆ వాడలో మగ్గం మీద కూర్చున్నవాడిదే పని. నూలును రాట్నం మీద కండెలకు చుట్టి మగ్గానికి అందించేది ఇంటి ఆడమనిషి, అది వంట లాగా, ఊడ్చడం లాగా ఇంట్లో ఉండటం కింద లెక్క. పని ఏమిటని అడిగితే ఏమీ లేదనే చెబుతారు.

ఆ సాయంత్రమే పీజీని వెంటబెట్టుకుని వాళ్లింటికి వెళ్లాను. ముందు గది మొత్తం మగ్గమే. ఇంట్లో గాలి వచ్చే చోటు అదొక్కటే, సాంబయ్య కూర్చునేది అక్కడ. వెనక గదికి కిటికీ లేదు. పైన రేకులు, వానకు ఒక మూల కారుతాయి. ఆ మూలనే గంజి పెట్టిన చిలపలు, అంటే నూలు చుట్టలు, గుట్టగా వేసి ఉన్నాయి. గంజి, తడి, చీకటి కలిస్తే ఏమవుతుందో అదే అయింది. అడుగు చిలపల మీద బూడిద రంగు బూజు. సులోచన పీట రాట్నం ముందు, ఆ గుట్టకు ఆనుకుని ఉంది. ఎట్లా చుడతావో చూపించమంటే కూర్చుని ఒక చిలప దులిపింది. వెలుతురులో ఆ దుమ్ము లేచి ఆమె ముఖం చుట్టూ తిరిగింది. నేను చాలని చేయి పట్టి బయటికి తెచ్చాను.

బ్రాంకోస్కోప్ అనే గొట్టంతో ఊపిరితిత్తిలో కాస్త సెలైన్ పోసి, కడిగిన నీటిని వెనక్కి లాగి పరీక్షించాం. పడనిది పీలిస్తే పెరిగే కణాలు అందులో నిండుగా ఉన్నాయి. ముగ్గురం బల్ల దగ్గర కూర్చున్నాం. పెథాలజిస్టు ఎక్కువ మాట్లాడే మనిషి కాదు, కొట్టేయండి అన్నాడు. ఇడియోపతిక్ అన్న మాటను నేనే కొట్టేసి, బూజు దుమ్ము వల్ల వచ్చిందని రాశాను. ఆ రోజు మా విభాగంలో టీలు, సమోసాలు. ఒక మనిషి బతుకుతుందని నిజంగానే అనుకున్నాను.

మొగుడూపెళ్లాలను కూర్చోబెట్టి చెప్పాను. మందులు సగమే, ఆ గది వదలడమే అసలు మందు అని. సులోచనను పాలకుర్తిలో అక్క ఇంటికి పంపారు. ఆ వానాకాలం ఆమె అక్కడే ఉంది. పరీక్షకు వచ్చినప్పుడు మెట్లెక్కి పైకి వచ్చింది, ఆయాసపడుతూనే గానీ ఎక్కింది. స్కాన్‌లో జబ్బు పెరగలేదు. ఇక్కడ సాంబయ్య పొద్దున కండెలు చుట్టుకుని, మధ్యాహ్నం నుంచి నేసుకునేవాడు. సగం రోజు మగ్గం ఖాళీ. కొడుకు పెళ్లాంతో మడికొండలో వేరుగా ఉంటూ అక్కడే డ్యూటీకి పోతాడు, వాడు తెచ్చేది వాడి సంసారానికే చాలీచాలదు. గుట్టను ముందు గదిలోకి మార్చమంటే మగ్గం కింద కాళ్లు పెట్టే గుంట తప్ప జాగా లేదు. కొత్తగా గది వేసుకోమని చెప్పడానికి నాకు నోరు రాలేదు.

చలికాలం రాకముందే సులోచన తిరిగొచ్చేసింది. నేను కోప్పడ్డాను. "చుట్టమింట్ల ఎన్నొద్దులుంట అమ్మా? ఆయన ఒక్కడు చుట్టుడు, నేసుడు, వండుకునుడు, ఎట్లయితది?" అంది. మాస్కులిచ్చాం. రాట్నం ముందు మాస్కు పెట్టుకుంటే ఊపిరాడదని, గడపలో కూర్చుని, ముక్కుకు కొంగు చుట్టుకుని కండెలు చుట్టింది. ముందు నుయ్యి వెనుక గొయ్యి. నెలనెలా నడక పరీక్షలో దూరం తగ్గుతూ పోయింది. చివరికి ఇంటికే ఆక్సిజన్ మిషన్ ఇప్పించాం. మిషన్ రొద, మగ్గం చప్పుడు ఒకే ఇంట్లో.

ఆఖరుసారి వార్డులో చేరినప్పుడు, రౌండ్స్ అయ్యాక నన్ను ఉండమంది. సాంబయ్య మందులకు కిందికి వెళ్లాడు.

"అమ్మా, ఫైలు మీద మొదలు ఓ మాట ఉండె గద, ఎందుకొచ్చిందో తెల్వదని. జర మల్ల అదే రాయుండ్రి."

ఎందుకని అడిగాను.

"అప్పుడు మా ఆయన బువ్వ తిన్నడు, పన్నడు. దేవుడిచ్చిండు అనుకున్నం. ఇప్పుడు మగ్గం మీద కూసుండి ఏడుస్తాండు, నిన్ను నేనే చంపుతాన్న అని. నేనెట్ల గూడ బతుకను. ఆయన్నన్న బతుకనీయుండ్రి."

తెలిసిన కారణాన్ని తెలియదని రాయడం కుదరదని చెప్పాను. ఆమె ముక్కుకున్న గొట్టం సర్దుకుని అటు తిరిగి పడుకుంది. నా గదికి వచ్చి తలుపు వేసుకుని ఏడ్చాను. ఆ మాటను మూడో వాడుకలో వాడినందుకు ఎందరినో తిట్టిన దాన్ని. ఒక ఇంట్లో అది మందులా పనిచేసిందని, దాన్ని నేనే తీసేశానని ఎవరికి చెప్పుకోను? రాసింది తప్పు కాదు. రాసినా ఆమెకు దక్కింది ఏమీ లేదు.

సులోచన ఆ వారంలోనే పోయింది.

దినాలయ్యాక సాంబయ్య మరణ కారణం రాసిన కాగితం కోసం వచ్చాడు. ఏం రాసిన్రు మేడం అని అడిగితే చదివి వినిపించాను. గంజి నూలు బూజు అన్నచోట కళ్లు మూసుకున్నాడు. కాగితం మడిచి జేబులో పెట్టుకుని, దండం పెట్టి లేచాడు. అడగకుండా ఉండవలసింది కాబోలు, అడిగాను. ఇప్పుడు కండెలు ఎవరు చుడుతున్నారని.

తలుపు వైపు తిరిగి చెప్పాడు.

"కోడలు చుడుతాంది మేడం." జేబులో కాగితం సర్దుకుంటూ అన్నాడు, "ఎక్వేం కాదు. ఇంట్లనే ఉంటది గద."

ఆయనకు తెలియక అన్న మాట కాదది. తెలిసే అన్నాడు, అని నా ముఖం చూడలేకపోయాడు. దినాలకు వచ్చి ఆ ఇంట్లోనే ఉండిపోయిన కోడలు మౌనికను ఒకసారి తీసుకురమ్మని, బూజు పట్టిన చిలపలు పారేసి రేకు కారే మూలైనా బాగుచేయించమని మళ్లీ చెప్పాను. సరే అన్నాడు. నేను రిటైరయ్యేదాకా ఆ అమ్మాయి మా ఓపీకి రాలేదు. పీజీని ఒకసారి పంపితే, మంచిగనే ఉన్న సార్, నాకేం ఫికర్ లేదు అని గడపలోంచే పంపించిందట.

ఈ వృత్తిలోకి వచ్చేవారికి ఆ కేసు నేర్పింది చెబుతాను. ఇడియోపతిక్ అని రాసే ముందు ఏం పని చేస్తావని అడగకండి. పొద్దున్నుంచి రాత్రిదాకా చేతులు ఏం చేస్తాయని అడగండి. మా విభాగంలో ఆ ప్రశ్న కేస్ షీటులోకి ఎక్కించాను, ఇప్పుడు ఉంచారో తీసేశారో తెలియదు. కారణం కనిపెట్టడం డాక్టరు పని. దాన్ని ఆ ఇంట్లోంచి బయటపెట్టడం డాక్టరు చేతిలో లేదు. మౌనిక పేరు మీద ఏదో ఒక రోజు ఒక కేస్ షీటు తెరుస్తారు. ఆ రోజు వృత్తి అన్నచోట గృహిణి అని రాయకుండా ఉంటే, కనీసం అక్కడైనా ఆమె జబ్బుకు కారణం తొందరగా దొరుకుతుంది.