స్టెన్‌షేర్‌లో చావులు లేని పదేళ్లు

మా అమ్మమ్మ ఆల్ఫ్‌హిల్డ్ చేతి మీదుగా తప్ప మా ఓలండ్ దీవుల్లో ముప్పై ఏళ్లపాటు ఒక్క ప్రాణి కూడా పైకి పోలేదు. యముడంతటివాడు ముందు ఆవిడ బల్ల దగ్గరికి వచ్చి, టోపీ తీసి నిలబడి, "ఈ వారం ఎవరెవర్ని తీసుకెళ్లమంటారండీ?" అని అడిగి మరీ పనిలోకి దిగేవాడు. నమ్మకం లేకపోతే ఎవరినైనా అడగండి. పోయినవాళ్లను అడిగితే మరీ మంచిది.

అసలు సంగతి ఇంత గొప్పగా ఉండదు. ఆమె పట్నంలో జనాభా లెక్కల ఆఫీసులో గుమాస్తా. ఏ దీవిలో ఎందరు పుట్టారు, ఎందరు పోయారు, ఏ వయసులో, ఏ జబ్బుతో పోయారు అన్నవి వేరుచేసి పట్టికలు కట్టడం ఆమె పని. ఆ పని ఆఫీసులో వదిలేసి వచ్చే రకం కాదు. "ఈ ఏడు గుండెపోట్లు బాగా తగ్గాయి" అని ఉప్పుచేప వడ్డిస్తూ పండగ కబురు చెప్పినట్టు చెప్పేది. మా తాతయ్య పోయిన రోజున ఏడుస్తూనే, "మగవాళ్ల సగటుకు కూడా అందలేదు" అని గొణిగిందట, ఆయనేదో పరీక్ష తప్పినట్టు.

ఉద్యోగం అయిపోయాక పుట్టిన దీవి స్టెన్‌షేర్‌కు వచ్చేసింది. రెండువందల చిల్లర జనం, ఒక కొట్టు, రాళ్ల మధ్య పడవల షెడ్లు. కాలువంత సముద్రం దాటితే అవతల అల్‌హోల్మ్ దీవి. బడి అక్కడే ఉంది, రెండు దీవుల పిల్లలకూ అదే. వృద్ధాశ్రమం కూడా అక్కడే. బడిలో వంట చేసేది అమ్మమ్మ చెల్లెలు ఎల్నా.

రెండేళ్ల కిందట వసంతకాలంలో పేపర్లో ఒక పట్టిక వచ్చింది. గడిచిన పదేళ్ల మరణాలు చూసి, ఏ దీవిలో మనిషి సగటు ఆయుష్షు ఎంతో వేశారు. స్టెన్‌షేర్‌కు తొంభై ఒకటి. అందరికంటే పైన. అల్‌హోల్మ్‌కు డెబ్భై రెండు. అందరికంటే అడుగున.

మా దీవి వాళ్ల కాళ్లు నేల మీద నిలవలేదు. పంచాయతీ పెద్ద గోస్టా అయితే ఫెర్రీ రేవులో "ఇక్కడి గాలి పీల్చండి, నూరేళ్లు బతకండి" అని బోర్డు పెట్టించాడు. ఆయనకు అరవై మూడేళ్లు, వంద మెట్రిక్ టన్నుల పొట్ట, నోట్లో ఆరని సిగరెట్టు. గాలి విషయం ఆయనే చెప్పాలి.

అమ్మమ్మ ఈ గంతుల్లో కలవదని అనుకుంటాం కదా. కలిసింది. మొదటి అడుగు ఆవిడదే. చెల్లెలికి ఫోన్ చేసి, "మీ బావుల్లో ఏదో ఉందే. నీళ్లు కాచుకుని తాగండి" అంది. ముప్పై ఏళ్లు లెక్కలు కట్టిన మనిషి, అంకె తన ఊరిని పొగిడేసరికి దాని వెనక ఏముందో చూడడం మరిచిపోయింది.

ఎల్నా ఫోన్ పెట్టేసింది. మళ్లీ ఎత్తలేదు. ఆమె కోపానికి కారణం ఉంది. బడిలో పిల్లలు తగ్గిపోయి మూసేస్తామంటున్నారు. తూర్డిస్ అనే పంతులమ్మ, మొగుడు, ముగ్గురు పిల్లలతో సహా ఆకురాలు కాలానికి అల్‌హోల్మ్ వస్తానని ఒప్పుకుంది. ఆ ముగ్గురు చేరితే బడి నిలుస్తుంది. పట్టిక చూసి, బావుల పుకారూ విని ఆవిడ ఉత్తరం రాసింది: మీ నీళ్లలో ఏముందో తేలేదాకా నా పిల్లలను తీసుకురాను.

ఆ ఎండాకాలంలోనే అమ్మమ్మ పడవ మెట్ల మీద జారి తుంటి విరగ్గొట్టుకుంది. ఆస్పత్రి నుంచి వచ్చాక ఒంటరిగా ఉండడం కుదరదని, అల్‌హోల్మ్ ఆశ్రమంలో మంచం ఖాళీ అయింది గనుక అక్కడికి వెళ్లాలని తేల్చారు. మర్నాడే గోస్టా ఒక కాగితం, ఒక నల్లరొట్టె పట్టుకుని దిగాడు.

"అత్తా, ఇక్కడొక సంతకం పెట్టెయ్. మిగతాదంతా నేను చూసుకుంటా."

"ఏంట్రా ఇది?"

"చిరునామా మార్పు. మంచం ఎక్కడుంటే చిరునామా అక్కడ. మన ఊరి ఆనవాయితీయే కదా."

"చట్టం ప్రకారం పాతదే ఉంచుకోవచ్చుగా. సామాన్లు సర్దుకోనీ, చూద్దాం. తొందరేంటి?"

"తొందరగా పెట్టకపోతే, ఈలోపు నీకేదన్నా అయితే..." అని ఆగి, రొట్టె వంక చూశాడు.

అమ్మమ్మ కళ్లద్దాలు పెట్టుకుంది.

"ఈలోపు నేను చస్తే ఏమవుతుందిరా?"

"అబ్బే, అది కాదు అత్తా."

"పడవలు కట్టే సిగ్‌ఫ్రిడ్ ఏ ఊరివాడు?"

"మనోడే."

"వాడి చావు ఏ ఊరి లెక్కలో పడింది?"

గోస్టా మెడ గోక్కున్నాడు. "ఆశ్రమానికి వెళ్లినప్పుడు చిరునామా మార్చుకున్నాడు కదా. చిరునామా ఎక్కడుంటే చావు ఆ ఊరి లెక్కలోకే. అల్‌హోల్మ్‌దే."

"హిల్డూరో? చర్చి గంట కొట్టే ఆ మనిషో?"

"వాళ్లూ అక్కడే."

"బతకడం మన దగ్గర, చావడం వాళ్ల దగ్గర. భలే ఏర్పాటురా!"

"మనమేమన్నా దొంగతనం చేశామా అత్తా? అందరూ ఇష్టపడే సంతకం పెట్టారు."

"పెట్టారు. కాటికి కాళ్లు చాపినవాళ్లందరినీ అటు పంపేసి, మా ఊళ్లో ఎవరూ చావరని బోర్డు కట్టాం. మనవాళ్లను మోసి మోసి వాళ్లు పట్టికలో అడుగుకు పోయారు. ఇది నాకు తట్టలేదు చూడు, నన్ను అనాలి." కాగితం వెనక్కి తోసింది. "ఆ బడి మూతపడితే నీ మనవలు రోజూ రెండు గంటలు ఫెర్రీలో పట్నం పోవాలి. ఆ సంగతి బోర్డు మీద రాయించావా?"

గోస్టా రొట్టె అక్కడే వదిలి వెళ్లిపోయాడు. మంచి రొట్టె, వారం పాటు తిన్నాం.

ఆమె చిరునామా మార్చకుండానే ఆశ్రమానికి వెళ్లింది. మొదటి రోజే కాఫీ వేళ గదిలో అందరినీ చూసి గట్టిగా అడిగింది: "ఇక్కడ స్టెన్‌షేర్ వాళ్లెవరు? చేతులెత్తండి." సగానికి పైగా చేతులు లేచాయి. ఒకాయన రెండూ ఎత్తాడు, కానీ ఆయన ఏం అడిగినా అంతే.

అప్పుడు పంతులమ్మకు ఫోన్ చేసింది. ఒకే మాట చెప్పింది: "నీళ్లను తిట్టకమ్మా. మా ముసలివాళ్లను కూడా వీళ్ల ఖాతాలో వేశాం. నమ్మకపోతే వచ్చి చూసుకో."

తూర్డిస్ వచ్చింది. సన్నగా, నిటారుగా, నవ్వని మనిషి. అమ్మమ్మ చక్రాల కుర్చీలో ఆమెను గదిగదికీ తిప్పింది. తిప్పింది అంటే, కుర్చీ తోసింది తూర్డిసే.

"వీళ్లంతా ఎనభై దాటినవాళ్లే కదండీ," అంది తూర్డిస్.

"మరేమనుకున్నావు? ఎనభై దాటినవాళ్లను పోగుచేసి ఒక చోట పెడితే అక్కడ చావులు ఎక్కువుంటాయి. ప్రసూతి ఆస్పత్రిలో పుట్టుకలు ఎక్కువున్నట్టే."

"మరి పిల్లలూ, నడివయసు వాళ్లూ? వాళ్ల లెక్క వేరే చూశారా?"

అమ్మమ్మ ముఖం వెలిగింది. ఆ ప్రశ్న ఎవరైనా అడగాలని ఆమె చాలా ఏళ్లుగా ఎదురుచూస్తోంది. "చూశాను. పదేళ్లలో అరవై లోపు పోయింది ఇక్కడ ఇద్దరు, మా దీవిలో ముగ్గురు. మాదే ఒకటెక్కువ, తల్లీ."

అప్పుడే ఎల్నా వచ్చింది, ఏలకుల పాన్‌కేక్, ఎండు ప్లమ్ పళ్ల పాకం పట్టుకుని. వసంతకాలం నుంచీ అక్కతో మాటల్లేవు. పళ్లెం ఠప్పున బల్ల మీద పెట్టింది.

"తిను. నీళ్లు కాచే చేశాను."

"బుద్ధి తక్కువై అన్నానే."

"తక్కువవడం కొత్తా? తుంటి విరిగితే గానీ తెలిసిరాలేదు నీకు." అని అక్క పళ్లెంలోనే పాకం ఎక్కువ పోసింది. తూర్డిస్ ఆ రోజు మొదటిసారి నవ్వింది. రెండు ముక్కలు తిని, కుళాయి నీళ్లు గ్లాసు నిండా పట్టుకుని తాగింది. సెప్టెంబరులో ముగ్గురు పిల్లలతో సామాను దింపింది. బడి నడుస్తోంది.

ఆశ్రమంలో ఉన్న మా వాళ్లలో ఆరుగురు చిరునామా మళ్లీ స్టెన్‌షేర్‌కు మార్పించుకున్నారు. కుర్చీల్లోంచి లేవకుండానే సొంతూరు చేరారు. వాళ్లలో పోయినవాళ్లు ఇక మా లెక్కలోకే రావడంతో మా దీవి పట్టికలో మధ్యకు జారడం మొదలుపెట్టింది. గోస్టా బోర్డు విప్పి, తిరగేసి, వెనకవైపు ఫెర్రీ వేళలు రాయించాడు. అది ఇప్పుడు అందరికీ ఉపయోగపడుతోంది. అమ్మమ్మతో మాత్రం అతను ఇంకా ముభావంగానే ఉంటాడు, క్రిస్మస్‌కు రొట్టె పంపిస్తాడు గానీ తను రాడు.

ఇదంతా రాసుకుని మొన్న ఆశ్రమానికి వెళ్లి చదివి వినిపించాను. కళ్లు మూసుకుని వింది. అయిపోయాక అడిగాను:

"మరి నీ చావు ఏ దీవి లెక్కలోకి వస్తుంది అమ్మమ్మా?"

"స్టెన్‌షేర్ లెక్కలోకే. కానీ నీ కథకు ముగింపు కావాలని నేను చావను. పోయి ఏదన్నా పని చూసుకోవే."