లెక్కలో సగమైపోయిన కమలా ఆంటీ

2025లో సింగపూర్‌లోని ఆంగ్ మో కియో ఇండస్ట్రియల్ పార్కులో ఒక చిన్న కన్‌స్ట్రక్షన్ సబ్‌కాంట్రాక్టర్ దగ్గర హెచ్‌ఆర్ నేనే, పేరోల్ నేనే. లోకల్ ఉద్యోగులు నలుగురు, సైట్లలో వర్క్ పర్మిట్ మీద వచ్చినవాళ్లు పద్దెనిమిది మంది. జీతాల ప్రశ్నలన్నీ వాట్సాప్‌కే వచ్చేవి. జవాబులు రైల్లో నిలబడే టైప్ కొట్టేసేదాన్ని.

సింగపూర్‌లో మినిమమ్ వేజ్ ఎంత అని చాలామంది అడుగుతారు. అందరికీ వర్తించే ఒకే అంకె లేదు. క్లీనింగ్ లాంటి కొన్ని పనులకు ప్రోగ్రెసివ్ వేజ్ అని విడిగా కనీస రేటు ఉంది. విదేశీ కార్మికుల్ని పెట్టుకున్న కంపెనీ తన లోకల్ ఉద్యోగులకు ఇంతకు తగ్గకుండా ఇవ్వాలన్నది ఇంకొకటి, దాన్ని లోకల్ క్వాలిఫయింగ్ శాలరీ అంటారు. మూడోది కోటా. మా రంగంలో ఆ జీతం పూర్తిగా అందుకునే ఒక్కో లోకల్ ఉద్యోగికి ఐదుగురు విదేశీ కార్మికుల్ని పెట్టుకోవచ్చు. ఈ మూడూ ఒకదానికొకటి ముడిపడి ఉంటాయని నాకు తెలుసు. తెలుసనే అనుకున్నాను.

కమలా ఆంటీ మా ఆఫీసులో క్లీనింగ్ చూసేది. ఇక్కడే పుట్టి పెరిగిన మనిషి. వాళ్లాయనకి, మేం అంకుల్ అనేవాళ్లం, వారానికి మూడు రోజులు డయాలసిస్ మొదలైంది.

"ఆ మూడు రోజులు నేను రాలేను లా. పని మానేయమంటావా మా?" అని తన సింగపూర్ యాసలో అడిగింది.

మానడం ఎందుకని పార్ట్ టైమ్‌కి మార్చాను. గంట రేటు చూశాను, రెండు రూల్స్‌కీ సరిపోయింది. రైలు టాంపినీస్ చేరేలోపే "డన్ ఆంటీ" అని మెసేజ్ పెట్టేశాను. మంచి పని చేశానని మురిసిపోయాను కూడా.

నాలుగు నెలల తర్వాత అప్పలనాయుడి పర్మిట్ రెన్యువల్ ఆగిపోయింది. శ్రీకాకుళం వైపు మనిషి, మా దగ్గర కాంక్రీటుకు చెక్క అచ్చులు బిగించే షటరింగ్ కార్పెంటర్. గడువు ముప్పై ఎనిమిది రోజులే ఉంది. స్క్రీన్ మీద ఎర్ర అక్షరాలు చూడగానే నాకు ఒళ్లు మండింది. పూర్తిగా చదవకుండానే అతనికి ఫోన్ చేశాను.

"రెన్యువల్‌కి మీరు పంపిన ఫొటో చూసిన్రా అసలు? మొహమే కనబడతలేదు! ఇట్లయితే నేనేం చెయ్యాలె?"

"మళ్లీ దిగుతానండి మేడమ్," అన్నాడు నాయుడు.

ఫోన్ పెట్టేశాక చదివాను. ఫొటోది తప్పే కాదు. కోటా దాటింది. పార్ట్ టైమ్‌తో నెల జీతం ఆ క్వాలిఫయింగ్ శాలరీ కంటే తగ్గి, ఆంటీ కోటా లెక్కలో సగం మనిషి అయింది. మూడు నెలల సగటు చూస్తారు కాబట్టి అప్పటిదాకా బయటపడలేదు. మా నలుగురూ మూడున్నర అయ్యారు, పదిహేడు మందికే చోటుంది. ముందుగా గడువు వచ్చింది నాయుడికి.

బాస్‌ది విజయవాడ, ఇరవై ఏళ్లుగా ఇక్కడే. "ఏముందమ్మా, ఆంటీని కాయితం మీద ఫుల్ టైమ్ చేసెయ్," అన్నాడు.

"పని చెయ్యని మనిషిని చేసినట్టు చూపిస్తే నేరం సర్."

"మరి వాణ్ణి ఇంటికి పంపేది నువ్వా, నేనా?"

సిగ్గు విడిచి చెబుతున్నాను, ఆంటీకి ఫోన్ చేసి ఆ కాయితం మీద సంతకం పెడతారా అని అడిగాను.

"సరే మా, సంతకం పెడతా. నాయుడు పాపం మంచోడు," అంది ఆంటీ. మళ్లీ తనే, "ఎవరైనా వచ్చి అడిగితే, అంకుల్ మిషన్ మీద ఉన్న టైమ్‌లో నేను ఎక్కడున్నానని చెప్పాలి మా?" అంది.

ఆ ఫారం నేను నింపలేదు.

మిగిలింది ఒకటే దారి. పర్మిట్ ముగియబోయే కార్మికుణ్ణి ఇంకో కంపెనీ తీసుకోవచ్చు, కానీ గడువుకు ఇరవై ఒక్క రోజుల ముందే దరఖాస్తు పెట్టాలి. అంటే నా చేతిలో పదిహేడు రోజులు. నాయుణ్ణి సైట్‌లో కలిసి జరిగిందంతా చెప్పాను. తప్పు నాదేనన్నాను.

"ఇంటికెల్తే మల్లీ డబ్బట్టుకుని ఏజెంటు గుమ్మం కాడికే కదండి," అన్నాడు. తర్వాత చిన్నగా, "మీరు తిట్టేరని నాలుగు ఫొటోలు దిగేను మేడమ్. అయితే ఫొటో బాగానే ఉందన్నమాట," అని నవ్వాడు.

అతను అరిచి ఉంటే బాగుండేది.

ఆ పదిహేను రోజులూ ఫోన్ చేతిలోంచి దించలేదు. ఎంతమంది కాంట్రాక్టర్లను అడిగానో! కోటా లేదన్నవాళ్లే ఎక్కువ. చివరికి చోవా చూ కాంగ్‌లో పని నడుస్తున్న ఒకాయన ఒప్పుకున్నాడు. ఇంకా రెండు రోజులుందనగా దరఖాస్తు వెళ్లింది. ఆ తర్వాతి వారం ఆమోదం వచ్చింది.

ఆంటీ ఇప్పటికీ పార్ట్ టైమే. బాస్ ఇంకో కార్మికుణ్ణి తీసుకోలేకపోయాడు, ఆ మాట నాకు గుర్తు చేస్తూనే ఉంటాడు. నేను మాత్రం జీతాల మాటకు రైల్లోంచి జవాబివ్వడం మానేశాను. ఒక మనిషి పని గంటలు మార్చే ముందు మూడు రూల్సూ పక్కపక్కన తెరుస్తాను. ఆ మార్పు ఇంకెవరి పర్మిట్ దాకా పోతుందో వేలు పెట్టి వెతుకుతాను. ఎవరిమీదైనా అరవాలనిపిస్తే, ముందు ఎర్ర అక్షరాలు చివరిదాకా చదువుతాను.

కొత్త సైట్‌లో చేరిన రోజు నాయుడు హెల్మెట్‌తో ఫొటో పంపాడు. కింద ఒకే లైను: "ఇందులో మొహం కనబడతందా మేడమ్?"