బ్రేకు వదిలింది నేను కాదు

ఆ రోజుల్లో మా ఇళ్ళలో కొత్త వస్తువు తప్పు చేయడం అనేది ఉండేది కాదు. కొత్త ఫ్రిజ్జులో పాలు విరిగితే పాలవాడి తప్పు, కొత్త మోటారు నీళ్ళు ఎత్తకపోతే బోరు తప్పు, కొత్త కారు వెనక్కి జారితే అందులో కూర్చున్న కుర్రాడి తప్పు. ఆ కుర్రాణ్ణి నేను. ఇప్పటికీ మా చుట్టాల్లో ఏ పెళ్ళికి వెళ్ళినా భోజనాల దగ్గర ఎవరో ఒకరు "ఏరా రివర్సూ, బాగున్నావా?" అని పలకరిస్తారు. నవ్వేసి మరిచిపోతాననుకుంటారేమో. మరిచిపోను. అన్నవాళ్ళందరూ గుర్తున్నారు, ఏ కూర కలుపుకుంటూ అన్నారో కూడా గుర్తుంది. మీరైనా రెండు పక్షాలూ వింటారని ఇది రాస్తున్నాను. (అవతలి పక్షం వాళ్ళు ఇది చదువుతారన్న భయం లేదు. వాళ్ళకు చదివే అలవాటే ఉంటే కారుతో పాటు ఇచ్చిన పుస్తకం చదివి ఉండేవాళ్ళు, నాకు ఈ పేరు వచ్చేది కాదు.)

అప్పుడు నేను డిప్లొమా పూర్తి చేసి, గుంటూరు బైపాసు పక్కన ఒక కార్ల సర్వీసు సెంటర్లో ట్రైనీగా చేరాను. ప్రత్తిపాడులో మా పెదనాన్నకు పత్తి, మిరప సేద్యం. ఆ ఏడు రెండూ కలిసొచ్చి కొత్త కారు కొన్నాడు. అందులో ఆటో హోల్డ్ అని ఒక సదుపాయం ఉండేది. గేరు లివరు పక్కన బటన్ నొక్కి పెట్టుకుంటే, బ్రేకు తొక్కి ఆగిన తరవాత కాలు తీసేసినా కారు కదలదు. బ్రేకును అదే పట్టుకుని ఉంటుంది. మళ్ళీ యాక్సిలరేటర్ తొక్కితే వదులుతుంది. కొన్న రోజు ఈ సంగతి పెదనాన్నకు వివరంగా చెప్పింది నేనే. "అంటే మన కాలు చేసే పని అదే చేస్తుందా? మరి కాలెందుకురా మనకి?" అన్నాడాయన. ఆ మాటతో ఆయన దృష్టిలో ఆటో హోల్డ్ కథ ముగిసింది. ఆ కారును ఆయన మిరప యార్డుకు వెళ్ళడానికి వాడేవాడు. దళారీకి చూపించడానికి బస్తాల్లోంచి తీసిన శాంపిల్ కాయల గోతం డిక్కీలో పెట్టేవాడు కాదు, డ్రైవరు సీటుకూ పక్క సీటుకూ మధ్య ఇరికించేవాడు. ఎందుకని అడిగితే, "కోల్డ్ స్టోరేజీలో పెడితే కాయ రంగు నిలుస్తుందా లేదా? ఇక్కడా ఏసీ గాలి సూటిగా తగుల్తది" అనేవాడు. 

కారుకు పూజ చేసిన రోజు పెద్దమ్మ పసుపు రాసింది, నిమ్మకాయలు తొక్కించింది, చివరికి లోపలికి తొంగి చూసింది. తాళం తిప్పి ఉండటం వల్ల, బెల్టు ఎవరూ పెట్టుకోకపోవడం వల్ల, స్టీరింగు వెనక మీటర్ల మధ్య ఎర్రదీపం ఒకటి కొట్టుకుంటోంది. "ఏంట్రా అది, కొత్త కారులో ఎర్రగా కన్ను కొడుతుంది? దిష్టి కన్నులా!" అంటూ తన నుదుటి మీది స్టిక్కర్ బొట్టు తీసి, కళ్ళకద్దుకుని, సరిగ్గా దాని మీద అతికించింది. మా పెద్దమ్మ పెట్టుకునేది చిన్నా చితకా బొట్టు కాదు, రూపాయి బిళ్ళంత వెల్వెట్ బొట్టు. అద్దం, బీరువా, ట్రాక్టరు, ఇన్వర్టరు, అన్నిటికీ ఆవిడ బొట్లే ఉండేవి కాబట్టి ఆ ఒక్కటి ఎవరికీ వింతగా తోచలేదు. దీపం మూతబడినా బెల్టు పెట్టుకోమని కూత మాత్రం ఆగలేదు. ఆ పని మా బావ చూసుకున్నాడు. పెద్దమ్మ అన్నగారి కొడుకు. ఏ పనైనా నాకొచ్చంటాడు కనుక ఆల్‌రౌండర్ బావ అనేవాళ్ళం. యాక్సెసరీల షాపులో డాష్‌బోర్డు విప్పించి బజరు వైరు పీకించుకొచ్చాడు. "చంటిపిల్లాడిలా కయ్యికయ్యిమంటంది మావయ్యా, నోరు మూయించా" అని గొప్పగా చెప్పాడు. నాకు ఈ సంగతి ఎవరూ చెప్పలేదు. (ఈ వాక్యం దయచేసి గుర్తు పెట్టుకోండి. తరవాత పనికొస్తుంది.)

అంతలో మా అక్కకు, అంటే పెదనాన్న కూతురికి, పెళ్ళి కుదిరింది. పెళ్ళికూతురి కారు నేనే నడపాలని అక్క అడిగింది, పెదనాన్న అందరి ముందూ సరేనన్నాడు. ఇప్పుడది చిన్న విషయంగా కనిపించవచ్చు. ట్రైనీ బతుకు బతుకుతూ, రోజంతా ఎవరివో కార్లు షెడ్డులోంచి బయటికి, బయటినుంచి షెడ్డులోకి తోలే కుర్రాడికి, పూలదండలు కట్టిన కారులో అక్కను కల్యాణమండపానికి తీసుకెళ్ళడం అంటే ఏమిటో నాకే తెలుసు. కొత్త చొక్కా కూడా కుట్టించుకున్నాను.

మండపం చూడటానికి రెండు కుటుంబాలూ గుంటూరు వెళ్ళిన రోజు మా కారు నేనే నడిపాను. వెనక కారులో పెళ్ళికొడుకు తండ్రి. రైల్వే వంతెన ఎక్కుతుండగా ట్రాఫిక్ ఆగింది. బెల్టు పెట్టుకునే ఉన్నాను, ఆటో హోల్డ్ నొక్కే ఉంది, బ్రేకు తొక్కాను, ఆగింది, న్యూట్రల్ వేసి కాలు తీశాను. పొద్దుట్నించీ ప్రతి సిగ్నల్ దగ్గరా చేసింది అదే, పట్టుకుంది కూడా. ఈసారి పట్టుకోలేదు. నేను మళ్ళీ బ్రేకు మీదికి కాలు వేసేలోపు ఢామ్మని చప్పుడైంది. వియ్యంకుడిగారి కారు ముందు బంపరు మా కారు వెనక బంపరును కౌగలించుకుంది. ఆయన తాపీగా దిగి, రెంటినీ చూసి, "అబ్బాయి ముందుకి కూడా బాగానే నడుపుతాడా అండీ?" అన్నాడు. అందరూ నవ్వారు. పెదనాన్న నవ్వలేదు. అదే నయం అనుకునేలోపు, అక్కడే, వంతెన మీదే, హారన్లు మోగుతుండగా, "నీకు బ్రేకు తొక్కడం ఎవడ్రా నేర్పింది? దిగు!" అన్నాడు. "నేను వదల్లేదు పెదనాన్నా, అదే వదిలింది" అన్నాను. "అది వదలడానికి దానికేమన్నా కాళ్ళున్నాయా?" అని తాళం తీసుకుని, వెనక సీట్లోంచి దిగిన బావ చేతిలో పెట్టాడు. బావ ఆ తాళాన్ని వేలికి తొడుక్కుని ఒకసారి గిర్రున తిప్పాడు. ఆ తిప్పడం నేను మరిచిపోలేదు.

బంపరు పని కోసం బావ కారును మా సర్వీసు సెంటరుకే తెచ్చాడు. మా సూపర్‌వైజరును చాటుగా నో ప్రాబ్లం గారు అనేవాళ్ళం. ఏ కారు వచ్చినా ఆయన నోటివెంట వచ్చే తీర్పు అదే. నేను పట్టుబట్టగా కంప్యూటరు తగిలించి చూశాడు. ఒక్క లోపం కూడా నమోదు కాలేదు. ర్యాంపు మీద ఆపి చూశాడు, కారు రాయిలా నిలబడింది. "నో ప్రాబ్లం. మీ ఇంటి గొడవ మీ ఇంట్లో పెట్టుకో" అన్నాడు. బావ నా ఎదురుగానే ఇంటికి ఫోను చేశాడు. "కారులో ఏం లోపం లేదంట మావయ్యా. లోపం స్టీరింగు ముందు కూర్చున్నదాంట్లోనేనంట." ఆయన అలా అనలేదు. ఆ రెండో వాక్యం బావ సొంతం.

నాకు ఆ పూట అన్నం సయించలేదు. బంపరుకు రంగు ఆరేదాకా కారు మా షెడ్డులోనే ఉంటుంది. ఆలోగా తేల్చకపోతే పెళ్ళికారు బావదే. భోజనాల టైములో అందరూ క్యారియర్లు విప్పుకుంటుంటే నేను వెళ్ళి బ్రేకు ఆయిల్ చూశాను, చక్రాల దగ్గర వైర్లు చూశాను, బటన్ చూశాను. అన్నీ మంచిపిల్లల్లా ఉన్నాయి. చివరికి డ్రైవరు సీట్లో కూర్చుని, బెల్టు పెట్టుకుని, కారు లోపలి కంప్యూటరుకు ఆ క్షణంలో ఏమేం తెలుస్తున్నాయో షెడ్డు కంప్యూటరు తగిలించి దాని స్క్రీను మీద చదవడం మొదలుపెట్టాను. ఆటో హోల్డ్ పనిచేయాలంటే దానికి కొన్ని షరతులున్నాయి. ఇంజను నడుస్తుండాలి, డ్రైవరు తలుపు మూసి ఉండాలి, డ్రైవరు బెల్టు పెట్టుకుని ఉండాలి. మనిషి సీట్లో ఉన్నాడన్న నమ్మకం కలగందే అది బాధ్యత తీసుకోదు. (మా వాళ్ళకంటే అదే నయం, ముందు నిర్ధారించుకుంటుంది.) ఇంజను, సరే. తలుపు, సరే. బెల్టు, పెట్టుకోలేదు. నా గుండె మీద బెల్టు అడ్డంగా ఉంది, క్లిక్కుమని తగిలించింది నేనే, స్క్రీను మాత్రం పెట్టుకోలేదంటోంది. బెల్టు తగిలించే బకిల్‌ను పట్టుకుని ఊపాను. పెట్టుకున్నాడు. మళ్ళీ ఊపాను. పెట్టుకోలేదు. దాన్ని తలకిందులుగా వంచి అరచేతిలో తట్టాను. గలగలా మిరప గింజలు రాలాయి. గింజల వెనక ఎర్రటి దుమ్ము. తుమ్ములు ఆగేదాకా నేను దేనికీ పనికి రాలేదు.

ఏసీ గాలికి రంగు నిలవాలని పెదనాన్న సీటు పక్కన ఇరికించిన కాయల గింజలు బకిల్ లోపల చేరి, బెల్టు తగిలిందని చెప్పే చిన్న స్విచ్చి కింద దొర్లుతున్నాయి. అవి పక్కకు జరిగితే కారుకు నేను ఉన్నట్టు, అడ్డం పడితే లేనట్టు. లేని మనిషి కోసం బ్రేకు ఎందుకు పట్టుకుంటుంది? లోపం లేదన్న మాటా నిజమే, అది తనకు తెలిసిన దాన్ని బట్టి సక్రమంగానే ప్రవర్తించింది. అయితే బెల్టు లేదనుకున్న కారు ఎర్రదీపం వెలిగించాలి కదా, కూత పెట్టాలి కదా? అప్పుడు పడింది నా కళ్ళ ముందున్న వెల్వెట్ బొట్టు మీద చూపు. ఎర్రదీపమూ, పక్కనే బ్రేకు పట్టుకున్నానని చెప్పే పచ్చదీపమూ, రెండూ దాని కిందే ఉన్నాయి. కూత సంగతి బావను ఫోనులో అడిగితే, "అదా? ఎప్పుడో పీకించా" అన్నాడు, ఉత్తరం పోస్టులో వేశానన్నట్టు.

తెలివైనవాడైతే గింజలు దులిపేసి ఊరుకునేవాడు. నేను దులిపినవాటిలో కొన్ని మళ్ళీ ఏరి బకిల్లో పోశాను, మిగతావి జేబులో వేసుకున్నాను. సాక్ష్యం చెడగొట్టుకునే అమాయకుణ్ణి కాదు. రంగు ఆరగానే కారు తీసుకుని ప్రత్తిపాడు వెళ్ళి, ఇంటి ముందు వాకిట్లోకి ఎక్కే ఏటవాలు మీద ఆపి, పెదనాన్నను పక్క సీట్లో కూర్చోబెట్టాను. వెనక సీట్లో పెద్దమ్మ, అక్క. బావ బయట నిలబడి పర్యవేక్షణ. బెల్టు చూపించాను, బటన్ చూపించాను, బ్రేకు తొక్కి ఆపాను, బకిల్‌ను ఒక్కసారి కదిపి, "ఇప్పుడు కాలు తీస్తున్నా, చూడు పెదనాన్నా" అన్నాను. కారు వెనక్కి జారింది. టక్కున ఆపాను.

"చూశావా?"

"చూశాను. మళ్ళీ బ్రేకు వదిలేశావు" అన్నాడు పెదనాన్న.

నాకు ఏడుపొచ్చినంత పనైంది. "ఆ బొట్టు తియ్యండి, కింద దీపం వెలుగుతూ ఉంటుంది, అదే చెప్తుంది" అన్నాను.  "పెళ్ళి పెట్టుకుని బొట్టు తియ్యమంటావేంట్రా, నోట్లో మంచి మాట రాదా నీకు?" అంది పెద్దమ్మ. బయట నుంచి బావ, "తప్పు కప్పిపుచ్చుకోడానికి బొట్టు జోలికి కూడా వచ్చావా ఏందోయ్?" అన్నాడు. నా దగ్గర స్క్రీను చెప్పిన మాటుంది, స్విచ్చి ఉంది, జేబులోంచి తీసిన గింజలు అరచేతి నిండా ఉన్నాయి, కానీ ఆ బొట్టు మీద చెయ్యి వేసే ధైర్యం నాకూ లేదు. అప్పుడు అక్క మాట్లాడింది. "అమ్మా, నువ్వు రోజూ రాత్రి బొట్టు తీసి అద్దానికి పెట్టట్లా? అది తియ్యడమా? చోటు మార్చడం. దాన్ని కూడా చోటు మార్చు."  పెద్దమ్మ మా మధ్య నుంచి ముందుకు వంగి, గోటితో మెల్లగా బొట్టు లేపింది. కింద ఎర్రదీపం. చిన్నదే. బెల్టు పెట్టుకున్న మనిషి బొమ్మ. పూజ నాటి నుంచీ ఎప్పుడెప్పుడు ఎన్నిసార్లు వెలిగిందో, వెలుగుతూనే ఉంది.

"అయ్యో, ఇన్నాళ్ళూ పాపం చెప్తానే ఉందే!" అంది పెద్దమ్మ, కారుతో.

నాతో కాదు, కారుతో. బొట్టును ఎక్కడ పెట్టాలా అని చుట్టూ చూసి, చేతికి దగ్గరగా ఉన్నది నేనే కాబట్టి, తెచ్చి నా నుదుట అతికించింది. అక్క పకపకా నవ్వింది. పెదనాన్న ఆ దీపం వైపూ, నా అరచేతిలోని గింజల వైపూ చూశాడు. ఒక గింజ తీసి వేళ్ళ మధ్య నలిపి వాసన చూశాడు. "మన తేజా మిరపకాయే" అన్నాడు. నేను ఎదురు చూసిన మాట అది కాదు. కానీ దిగుతూ, "ఒరేయ్, ఆ తాళం వాడికియ్యి" అని బావతో అన్నాడు. తాళం నా దగ్గరే ఉందని, కారు నడిపి తెచ్చింది నేనేనని ఆ క్షణంలో ఎవరికీ గుర్తు రాలేదు. బావ జేబులు తడుముకోవడం మాత్రం నేను కళ్ళారా చూశాను.

పెళ్ళికారు నేనే నడిపాను. పక్కన కూర్చున్న పెదనాన్న దారి పొడుగునా "బ్రేకు... బ్రేకు మీద కాలుంచు" అంటూనే ఉన్నాడు. బంధువులకు మాత్రం తరవాతి కథ ఎవరూ చెప్పలేదు, వాళ్ళకు వంతెన దగ్గరి కథే నచ్చింది, పేరు అలాగే ఉండిపోయింది. తప్పు నీది కాదురా అన్న మాట పెదనాన్న ఇంతవరకూ అనలేదు. నేనూ అడగలేదు, కానీ లెక్కలోంచి తీసెయ్యలేదు. మొన్న నా కారులో యార్డుకు తీసుకెళ్ళినప్పుడు, ఎక్కేముందే శాంపిల్ గోతం తనంతట తనే డిక్కీలో పెట్టి వచ్చి, బెల్టు తగిలించుకుని, "చూడు, ఎర్రది ఆరిందా?" అని అడిగాడు. ఆరింది అన్నాను. దాన్ని క్షమాపణ కింద జమ వేసుకోవచ్చునా అని ఆ రోజంతా ఆలోచించి, కుదరదని తేల్చుకున్నాను.

నా కారు మీటర్ల పక్కన, ఏ దీపానికీ అడ్డం రాని మూలన, వెల్వెట్ అరిగి గోధుమ రంగు తిరిగిన బొట్టు ఒకటుంది. ఆ రోజు నా నుదుటి మీది నుంచి చోటు మారి అక్కడికొచ్చింది. ట్రాఫిక్‌లో ఆగినప్పుడల్లా, పక్కన పచ్చదీపం వెలిగిందని చూసుకుని కాలు తీస్తాను. అరచేతిలో మిరప గింజలు పట్టుకుని, నుదుట రూపాయి బిళ్ళంత బొట్టుతో, న్యాయం కోసం కారులో కూర్చున్న ఆ కుర్రాడు గుర్తొస్తాడు. కోపం తగ్గిందని కాదు. కానీ ఆ గింజల ఘాటుకి వాడి ముక్కు ఎంత ఎర్రబడిందో తలచుకుంటే, వెనకవాళ్ళు హారన్ కొట్టేదాకా నాకు నవ్వు ఆగదు.