మాడు వాసన

మా నాన్న మాటకారి కాదు. కొట్టుకు వచ్చినవాళ్లు ఎంత కదిలించినా 'ఊఁ' తప్ప ఇంకో మాట వచ్చేది కాదు. ఆయన పనంతా ముక్కుతోనే. మైలాపూరులో మాది కాఫీపొడి కొట్టు. ముందు గదిలో గల్లా, పొడి ఆడే మర. దాని వెనక గింజలు వేయించే ఇనుప పీపా. ఆ వెనకే మా కాపురం. పీపా తిరుగుతున్నంతసేపూ నాన్న పక్కనే పీట మీద కూర్చుని కళ్లు మూసుకునేవాడు. కొత్తవాళ్లు ఆయన కునుకు తీస్తున్నాడనుకునేవాళ్లు. ఉన్నట్టుండి లేచి మూత తీసేవాడు. గింజ సరిగ్గా వేగి ఉండేది.

తమ్ముడికి ఆ పొగంటేనే చిరాకు. నేను మాత్రం బడి నుంచి రాగానే ఆ పీట పక్కన చేరేదాన్ని. "కంటితో కాదే, ముక్కుతో చూడు," అనేవాడు నాన్న. అంత పొడుగు మాట ఆయన ఇంకెవరితోనూ అనలేదు. పెద్దయ్యాక కూడా నేను ఆ కొట్టు వదల్లేదు. ఎవరైనా "ఇంకేం పని దొరకలేదా" అంటే, వాళ్లకు ఆ రోజు పొడి కాస్త ఆలస్యంగా కట్టేదాన్ని.

మా కొట్టుకు ఒక పద్ధతి ఉంది, తాత పెట్టింది. పొద్దున వేయించిన మొదటి వాయితో డికాక్షన్ దించి, ఒక కాఫీ కలిపి, వేయించిన మనిషే తాగాలి. అప్పటిదాకా షట్టరు సగమే లేస్తుంది, ఒక్క పొట్లం కూడా అమ్మరు. నాన్న తాగి తల ఊపితే వ్యాపారం మొదలు. మొహం చిట్లించాడా, వాయి మొత్తం చెత్తకుప్పకే. ఆ కాఫీ కలిపేది అమ్మ. ఇంకెవరు కలిపినా ఆయన తాగడు.

కరోనా రెండో అలలో నాన్నా నేనూ ఒకేసారి పడ్డాం. నేను లేచాను. నాన్న లేవలేదు.

ఇంటికి వచ్చాక కొట్టు తలుపు తీశాను. తరాల కాఫీ వాసన పట్టిన గోడలవి. నాకు ఏ వాసనా తెలియలేదు. గోనె మూతి విప్పి తల లోపలికి పెట్టాను. అయినా ఏమీ లేదు. ఆస్పత్రిలో రాని ఏడుపు ఆ గోనె దగ్గర వచ్చింది. మనిషి పోయాడు, ఆయన నాకిచ్చింది కూడా ఆయనతోనే పోయింది. ఇంక నేనెవరిని అనిపించింది. డాక్టరును అడిగితే వాసన రావచ్చు, రాకపోవచ్చు అన్నాడు. ఆ మాత్రం మా వీధిలో కిళ్లీకొట్టతనూ చెప్పగలడని విసుక్కుంటూ బయటికొచ్చాను.

అమ్మ వెనక గదిలో గోడవైపు తిరిగి పడుకునేది. కాఫీ మానేసింది. "ఆయనకు కలిపిన చెయ్యి. ఇంక నాకెందుకే కాపీ," అంది. అన్నం కూడా బతిమాలితే రెండు ముద్దలు.

తమ్ముడు ఊరి చివర షోళింగనల్లూరులో ఉద్యోగం చేస్తాడు, ఆదివారాలు వచ్చి మమ్మల్ని చూసి పోతాడు. ఒకసారి వచ్చి మెల్లిగా అన్నాడు. "అక్కా, కొట్టు బాడిగకు ఇచ్చేద్దాం. సెల్‌ఫోన్ షాపోళ్లు అడగతా ఉండారు. నీకు వాసనే తెలీదు, దేన్ని పెట్టుకొని వేయిస్తావు? సుమ్మా ఊరికే మొండికేయద్దు."

వాడి మాటలో తప్పేమీ లేదు. అందుకే నాకు ఒళ్లు మరీ మండింది. "చెవులుండాయి, కండ్లుండాయి! ముక్కొక్కటేనా మనిషికి?" అని ఎగిరిపడ్డాను. అదృష్టం కొద్దీ ఆడి నెల, అంటే అరవవాళ్ల ఆషాఢం, వస్తోంది. ఆడిలో ఇక్కడ ఎవరూ కొత్త కొట్టు తెరవరు. "సరి, ఆడి పోయినాక మాట్లాడదాం," అన్నాడు తమ్ముడు. నాకు దొరికిన గడువు అదే.

మర్నాడే పీపా కింద గ్యాసు వెలిగించాను. గింజ వేగేటప్పుడు చిటపటమంటుంది. చిన్నప్పటి నుంచి వింటున్నా ఎన్నడూ పట్టించుకోని చప్పుడు. ఇప్పుడు చెవి దానికే అప్పగించాను. గరిటెతో నాలుగు గింజలు తీసి రంగు చూస్తూ, ఇంకాస్త, ఇంకాస్త అనుకుంటున్నాను. పొగ రేగింది. పొగ ఎప్పుడూ వచ్చేదే కదా అనుకున్నాను.

"ఏమే! మాడిపోతా ఉండాది!"

వెనక గది నుంచి అమ్మ కేక. కేక వెనకే అమ్మ. జుట్టు విరబోసుకుని, నన్ను పక్కకు నెట్టి, గ్యాసు కట్టేసింది. నాన్న పోయాక ఆమె ఆ గడప దాటడం అదే మొదలు. "మీ నాయన చూసుంటే..." అని ఆగిపోయింది. ఇద్దరం ఆ నల్లటి గింజల ముందు నిలబడి గట్టిగా ఏడ్చాం. కానీ ఏడుస్తూనే నాకు ఒక సంగతి తట్టింది. మా అమ్మకు ముక్కు ఉంది!

అసలు అది ఇన్నాళ్లూ నాకెందుకు తోచలేదో! నాన్న మూత తీసే వేళకు అమ్మ పొయ్యి మీద పాలు పొంగుతుండేవి. ఆయన ఏనాడూ ఆమెను కేకేసింది లేదు. వంటింట్లో ఉండే ఆవిడ వాసన పట్టి ప్రతి వాయినీ ఆయనతోపాటే వేయించింది. ఆ మాట ఆవిడకే తెలియదు.

పీట మీద కూర్చోమంటే "నాకు చేతకాదు పోవే," అని మళ్లీ వెళ్లి పడుకుంది. నేను తక్కువదాన్నా? తలుపు బార్లా తెరిచి పెట్టి ఇంకో వాయి వేశాను. కాసేపటికి మంచం మీంచే "చాలు, దించు!" అని అరిచింది. మరో రోజు గడప దగ్గర నిలబడి అరిచింది. ఆ తరవాత నాన్న పీట మీద కూర్చుని, నా చెవి పక్కనే అరిచింది. మెల్లిగా చెప్పొచ్చు కదా అంటే వినదు. చిటపట మొదలవగానే నేను వేలెత్తాలి, అక్కడి నుంచి వాసన ఆమె వంతు. అట్లా పోట్లాడుకుంటూ పోట్లాడుకుంటూ ఆడి చివరికి ఒక వాయి దించాం. రంగు చూస్తే నాన్న దించినట్టే ఉంది.

డికాక్షన్ దిగింది. ఇప్పుడు తాగేదెవరు? నాకు వేడి తప్ప రుచి తెలియదు. అమ్మ మానేసింది. సగం లేచిన షట్టరు కిందనుంచి ఒక తల లోపలికి వంగింది. మా పాత ఖాతాదారు, టీచరుగా చేసి రిటైరైన పెద్దావిడ. ఆమెదీ మాలాగే ఎప్పుడో వచ్చి ఇక్కడ స్థిరపడ్డ తెలుగు కుటుంబమే.

"ఏమ్మా, పొడి ఇస్తారా లేదా? బయట కడల్లో కొన్న డబ్బా కాపీ తాగి తాగి నాలిక చచ్చిపోయింది."

"ఇంకా తాగి చూడలేదండీ," అన్నాను.

అమ్మ లేచింది. పాలు కాచింది. నాన్నకు కలిపినట్టే నురగ వచ్చేదాకా తిరగబోసింది. డవరా గ్లాసు నా చేతికిస్తుందేమో అనుకున్నాను. "వేయించినోళ్లు తాగాల. నేనూ వేయిస్తిని కదా," అని తన నోటికే ఎత్తుకుంది. ఒక గుక్క తాగి ఆగింది. పెద్దావిడ అలాగే వంగి చూస్తోంది. అమ్మ ఆపకుండా చివరిదాకా తాగి గ్లాసు బోర్లించింది.

"షట్టరెత్తవే!"

ఎత్తాను చూడండి, ఆ చప్పుడుకు వీధి మొత్తం తిరిగి చూసింది. ఆదివారం తమ్ముడు వచ్చి ఒక గ్లాసు తాగాడు. పోతూ పోతూ అర కిలో కట్టించుకున్నాడు. సెల్‌ఫోన్ షాపు వేరే వీధిలో వెలిసింది.

మరుసటి ఏడు వానల్లో అమ్మకు జలుబు చేసింది. చెబితే పీట మీద కూర్చోనివ్వనని దాచిపెట్టింది. నేను ముందు గదిలో పొడి ఆడుతున్నాను, మర రొదలో చిటపట వినపడదు. అమ్మ ఉందిలే అని ధీమాగా ఉన్నాను. ఉన్నట్టుండి ముక్కులో ఏదో గుచ్చుకున్నట్టయింది. మర కట్టేసి నిలబడ్డాను. మళ్లీ వచ్చింది. నల్లగా, ఘాటుగా, అసహ్యంగా.

"మా! మాడిపోతా ఉండాది!"

పరుగెత్తుకెళ్లి గ్యాసు కట్టేశాను. అమ్మ పీట మీంచి లేవకుండా నన్నే చూస్తోంది. "నీకెట్ట తెలిసిందే?" అంది. ఆమె మూత తీసి, చెయ్యి కాలుతున్నా లెక్కచేయక గుప్పెడు గింజలు నా ముక్కు కింద పెట్టింది. "ఏంది ఇది? చెప్పు!"

"మాడు మా! ఘోరమైన మాడు!"

ఒక్క గింజ కిందపడితే ఏరి డబ్బాలో వేసే మా అమ్మ, మాడిన ఆ వాయిని చూసి పగలబడి నవ్వింది. అవతల పారేయాల్సిన వాయి అది. పద్ధతిని పక్కనపెట్టి ఆ నల్ల గింజలనే పొడి ఆడించి, డికాక్షన్ దించి, రెండు కాఫీలు కలిపింది. నా జన్మలో అంత చెత్త కాఫీ తాగలేదు. గ్లాసు ఖాళీ చేసి, ఇంకోటి పోయమ్మా అన్నాను.