రెండు మెట్లు కిందికి రాసిన జోలపాట

శుక్రవారం సాయంత్రం పప్పుకి తాలింపు వేస్తున్నాను. మా పెద్దది క్లాజెట్‌లోంచి స్టేపుల్ చేసిన నాలుగు కాగితాలు పట్టుకొచ్చి నా పక్కన నిలబడింది. "మమ్మీ, జర్మన్ అమ్మమ్మ పోగొట్టుకున్నాను అని ఎప్పుడూ చెప్తుంది కదా, ఆ పాట ఇదేనా?" అంది. పైన ఎర్ర పెన్సిల్‌తో ఉన్న రాతని చదివి కూడా వినిపించింది. "కచేరికి ఇదే." దాని కింద రెండు గీతలు.

ఆవాలు మాడిపోతున్నాయి. స్టవ్ ఆపాలని నాకు తోచలేదు.

ఐదేళ్ళుగా మోస్తున్న బరువు ఆ నాలుగు కాగితాలది. ఎందుకు చింపెయ్యలేదు అని మీరడగచ్చు. నన్ను నేను చాలాసార్లు అడుక్కున్నాను. మూడు అపార్ట్‌మెంట్లు మారాం. మారినప్పుడల్లా పాత బట్టలు, పిల్లల చిన్నప్పటి బొమ్మలు అన్నీ ఇచ్చేశాను. ఆ కాగితాలు మాత్రం శీతాకాలం కోట్ల కింద పెట్టెలో పెట్టుకుని తెచ్చుకున్నాను. భయం వల్ల కాదనుకుంటాను. గెలిచినవాళ్ళు ఏదో ఒక గుర్తు దాచుకుంటారు కదా, అలా దాచుకున్నాను. ఈ మాట రాయడానికి ఇప్పుడే నాకు పది నిమిషాలు పట్టింది.

మీరెవరో నాకు తెలియదు. మా ఆయన పక్క గదిలో నిద్రపోతున్నాడు. ఆయనకంటే ముందు మీకు చెబుతున్నాను.

ఆ జర్మన్ అమ్మమ్మ పేరు రాయను. మేడమ్ అంటాను. జర్మనీలో చిన్న ఊళ్ళో ట్రామ్ నడిపే ఆయన కూతురు. పంతొమ్మిదేళ్ళకి ఒక చిన్న పట్నం ఒపెరాలో నెలజీతానికి చేరింది. అక్కడి పద్ధతి అదట, ఆఫీసు ఉద్యోగంలాగే, ఏ వేషం ఇస్తే అది పాడాలి. ఆవిడది మెజో గొంతు. ఆడవాళ్ళ గొంతుల్లో నడిమిది, కొంచెం మంద్రంగా ఉండేది. నాయిక పాత్రలు పై గొంతువాళ్ళకి పోతాయి. మెజోలకి మిగిలేవి దాసీలు, దాదులు, ప్యాంటు తొడుక్కుని పాడే మగపిల్లల వేషాలు. "ముప్ఫై ఏళ్ళ దాకా నేను మగపిల్లాణ్ణి, నలభై దాటగానే మంత్రగత్తెని, మధ్యలో ఆడదానిగా ఉన్నది పదేళ్ళే" అనేది. నవ్వకుండా అనేది. మేము నవ్వేవాళ్ళం. ఒకసారి అమెరికాలో ఎవరికో జబ్బు చేస్తే ఒక్క రాత్రికి బదులుగా పాడడానికి వచ్చింది. ఇక్కడే ఉండిపోయింది. ఆర్కెస్ట్రాలో వయొలిన్ లాంటి వయోలా వాయించే ఆయన్ని చేసుకుంది. ఆయన పోయాక న్యూజెర్సీలో ఇంట్లోనే పాఠాలు చెప్పేది.

నేను కోస్తాలో మా ఊరి చర్చిలో పన్నెండో ఏటినుంచి పాడినదాన్ని. ఎం.ఎస్సీ. చదివి, పెళ్ళి చేసుకుని, పనిచేసే వీల్లేని వీసా మీద న్యూజెర్సీలోని ప్లెయిన్స్‌బరో వచ్చాను. ఇక్కడి మా తెలుగు చర్చిలో నా సోలోకి పెద్దవాళ్ళు కళ్ళు తుడుచుకునేవారు. అదే నన్ను మేడమ్ ఇంటికి తీసుకెళ్ళింది. నాకో గొంతుంది, నాకంటూ ఉన్నది అదొక్కటే అనుకున్నాను. ఆవిడ్ని షాపుకి, డాక్టర్ దగ్గరకి డ్రైవ్ చేసేదాన్ని, ఆవిడ ఉత్తరాలు టైప్ చేసేదాన్ని. బదులుగా వారానికి రెండు పాఠాలు. నాలుగేళ్ళు అలా జరిగింది. నా పిల్లలు ఆవిడ్ని జర్మన్ అమ్మమ్మ అనేవాళ్ళు. మొదట ముఖం చిట్లించేది, తర్వాత తనే ఫోన్‌లో "నేను జర్మన్ అమ్మమ్మని" అనడం మొదలుపెట్టింది.

ఒక వసంతంలో శిష్యులందరితో కచేరి పెట్టింది. నా పాట ఎనిమిది నెలలు సాధన చేశాను. అప్పటికి చిన్నదానికి అయిదో నెల. హాల్లో మా ఆయన దాన్ని ఎత్తుకుని, అయిదేళ్ళ పెద్దదాన్ని పక్కన కూచోబెట్టుకుని ముందు వరసలో ఉన్నాడు. నేను పాడుతుంటే చిన్నది ఏడవడం మొదలుపెట్టింది. నా కళ్ళు అటు పోయాయి. పోవా? రెండు వాక్యాలు తడబడ్డాను. మేడమ్ చెయ్యెత్తి పియానో ఆపించింది. అందరి ముందూ, తీరిగ్గా, "స్టవ్ మీద పాలు పెట్టి వచ్చినదానిలా పాడుతున్నావు. ఇంటికెళ్ళి పాలు దింపుకో" అంది.

హాలంతా నవ్వింది. ఆ మాట బాగుంది మరి. ఎంత బాగుందంటే మా ఆయన కూడా నవ్వాడు. మా పెద్దది, ఏం అర్థమైందో ఏమో, అందరికంటే గట్టిగా నవ్వింది.

నా పాట ఆవిడ మరో అమ్మాయి చేత పాడించింది. నేను కూచుని విన్నాను. కారులో మా ఆయన సరదాకి అందిలే అన్నాడు. తర్వాతి మంగళవారం పాఠానికి వెళ్ళాను. ఎందుకు మానెయ్యలేదు? మానేస్తే ఆవిడకి నేనొక పాలు పొంగిన తల్లిగా మిగిలిపోతాను. వెళ్తూ ఉంటే ఏదో ఒకనాడు నా రోజు వస్తుంది. అప్పటికి ఇంత స్పష్టంగా అనుకోలేదని రాయాలనుంది, కానీ అనుకున్నాను. పధ్నాలుగు నెలలు ఆవిడ్ని డ్రైవ్ చేసి తిప్పుతూ అనుకున్నాను.

ఆ రోజు దానంతటదే వచ్చింది. డెబ్భై నాలుగేళ్ళకి మేడమ్ ఆఖరి కచేరి పెట్టుకుంది. ప్రతి కచేరి చివర్లో ఆవిడ పాడే జర్మన్ జోలపాట ఒకటుంది. దాని ఆఖర్లో ఒక పై స్వరం. అది ఇక అందడం లేదు. ఒక మధ్యాహ్నం వంటింటి తలుపు మూసి, పాట మొత్తం శ్రుతిలో రెండు మెట్లు కిందికి దింపి కంప్యూటర్‌లో రాసివ్వమని నన్ను అడిగింది. ఎవరికీ తెలియకూడదంది. చెబుతున్నప్పుడు ఆవిడ మెడ ఎర్రగా కందిపోయింది.

నాకది వింతగా తోచింది. మా చర్చిలో కీబోర్డ్ వాయించే అన్న, పాడేవాళ్ళ గొంతు చూసి ఒక బటన్ నొక్కుతాడు. శ్రుతి దిగుతుంది. పాడేస్తాం. ఎవరి శ్రుతి వాళ్ళది, అందులో సిగ్గేముంది? ఆవిడకి మాత్రం అది చెప్పుకోలేని సంగతి. తన పరువు నా చేతిలో పెడుతోందని నాకు తెలిసింది. చక్కగా రాసిచ్చాను. ప్రింట్ తీసినప్పుడు ఆవిడే ఎర్ర పెన్సిల్‌తో "కచేరికి ఇదే" అని రాసి ఫోల్డర్‌లో పెట్టింది.

కచేరి రోజు ఎప్పుడూ పియానో వాయించే ఆయనకి జ్వరం. గంట ముందు కొత్తాయన వచ్చాడు. గొంతు అలిసిపోకూడదని మేడమ్ ఆయనతో కష్టమైనవి మాత్రమే సరిచూసుకుంది. జోలపాట తేలిక, అక్కర్లేదంది. పేజీలు తిప్పేది నేను. నల్ల డ్రెస్ వేసుకుని, పియానో పక్కన కూచుని, ఎవరికీ కనపడకుండా ఉండాల్సిన మనిషిని. ఫోల్డర్ నా చేతిలో ఉంది. ఆవిడ పుస్తకంలోంచి తీసిన, అసలు శ్రుతిలో ఉన్న కాపీ నా బ్యాగ్‌లో ఉంది. ఎందుకు ఉంది? బయల్దేరే ముందు ఇంటి దగ్గరే బ్యాగ్‌లో పెట్టుకున్నాను గనక ఉంది. ఆఖరి నిమిషంలో చెయ్యి దానంతటదే చేసిందని చెప్పుకోవడానికి వీల్లేదు. రెస్ట్‌రూమ్‌లో తలుపు గడియ పెట్టుకుని మార్చాను. మూసిన ఫోల్డర్‌ని మళ్ళీ తెరిచి చూడలేదు. పాలసీసా సరిగ్గా మూత పెట్టానో లేదో అని రోజుకి ఇరవైసార్లు చూసుకునే నా చేతులు.

పియానో మొదలవగానే మేడమ్‌కి తెలిసిపోయింది. ఒక్క క్షణం తల తిప్పి చూసింది. వాయించే ఆయన వైపు కాదు, నా వైపు. ఆపచ్చు, కానీ ఆపదు. జీవితంలో ఎప్పుడూ ఆపలేదట, ఒకసారి స్టేజి మీద జుట్టుకి నిప్పంటుకున్నా ఆపలేదట. పాడింది. మొదటి చరణం దాటింది. రెండో చరణం ఆఖర్లో ఆ స్వరం దగ్గర గొంతు రెండుగా చీలి, గాలి మాత్రమే వచ్చింది. అందరూ లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. అవి ఎలాంటి చప్పట్లో ఆవిడకి తెలుసు. నాకూ తెలుసు. ఆ నిమిషంలో నాకు కలిగినదాన్ని సంతోషం అనకుండా ఇంకేమీ అనలేను.

అక్కడితో ఆగి ఉంటే మీకు ఇది రాసేదాన్ని కాదేమో.

సోమవారం ఆవిడ వంటింట్లో ఇద్దరమే ఉన్నాం. కాఫీ పోస్తూ అడిగింది.

"ఆయనకి నువ్విచ్చిన కాగితం ఏది?"

"ఫోల్డర్‌లో మీరు పెట్టిందే మేడమ్."

"నేను ఎర్ర పెన్సిల్‌తో రాసింది పెట్టాను."

"పుస్తకంలోది ఉందండీ. నేను చూశాను. మీరు మనసు మార్చుకున్నారేమో అనుకున్నాను."

"రాసినట్టు గుర్తుందే నాకు."

"రాస్తానన్నారు" అన్నాను. చాలా మెల్లగా, జాలిగా అన్నాను.

ఆవిడ కాఫీ కెటిల్ బల్ల మీద పెట్టేసింది. తర్వాత "అయితే నేనే" అంది. వాళ్ళమ్మకి కూడా మతిమరుపు ఇలాగే మొదలైందని చెప్పింది. నేను లేచి ఆవిడ వీపు నిమిరాను.

స్వరం చీలడం నా పగ. దానికి నేనిప్పటికీ గట్టిగా పశ్చాత్తాపపడలేకపోతున్నాను. కానీ ఆ వంటింట్లో అన్న మాట? ఒక మనిషి తన బుర్రని తనే నమ్మకుండా చేశాను. పాఠాలు ఆపేసింది. పియానో ఎవరికో ఇచ్చేసింది. ఇంట్లో కూనిరాగం తియ్యడం కూడా మానేసింది. ఒక చిన్న నోట్‌బుక్ జేబులో పెట్టుకుని అన్నీ రాసుకోవడం మొదలుపెట్టింది. "తాళం వేశాను." "మాత్ర వేసుకున్నాను." ఒకరోజు పేజీ తెరిచి ఉంటే చూశాను. "స్టవ్ ఆపాను" అని మూడుసార్లు రాసి ఉంది. స్టవ్ పేరు చెప్పి నలుగురూ నన్ను చూసి నవ్వేలా చేసిన మనిషి. బయటికొచ్చి కారులో కూచుని నవ్వాను. తర్వాత ఏడ్చానని చెబితే బాగుంటుంది, కానీ ఏడవలేదు. ఇంటికెళ్ళి మా స్టవ్ చూసుకున్నాను.

ఇప్పుడావిడ అరగంట దూరంలో వృద్ధుల హోమ్‌లో ఉంది. ఏడాదిగా నిజంగానే కొన్ని మర్చిపోతోంది. వయసు వల్లా, నా వల్లా? డాక్టర్లు ఏదో పేరు చెప్పారు. నేను దాన్ని పట్టుకుని వేలాడుతున్నాను. వెళ్ళినప్పుడల్లా కొత్తవాళ్ళకి ఒకే కథ చెబుతుంది. ఆఖరి కచేరిలో సరైనది ఎక్కడో పోగొట్టుకుని తప్పు కాగితం ఇచ్చానని, అప్పుడే తన తలకాయ సంగతి తెలిసిందని. నా చెయ్యి పట్టుకుని, "ఈ అమ్మాయి ఒక్క మాట కూడా అనలేదు" అంటుంది. పిల్లలకి ఆ కథ కంఠతా వచ్చు.

మా చర్చిలో నెల మొదటి ఆదివారం ప్రభువు బల్ల, రొట్టె, ద్రాక్షరసం పంచుతారు. ఎవరిమీదైనా విరోధం ఉంటే ముందు సమాధానపడి రండి అంటారు పాస్టర్ గారు. ఆ మాట విన్నప్పుడల్లా నేను మనసులో, ఆవిడే రావాలి నా దగ్గరికి, అనుకునేదాన్ని. అనుకుని రొట్టె తీసుకునేదాన్ని. ఐదేళ్ళు.

రేపు ఆదివారం చర్చి అయ్యాక మా పెద్దది హోమ్‌లో ఆవిడకి ఆ జోలపాట పాడాలి. ఆ పాట కాగితాల కోసమే క్లాజెట్ వెతికింది. శుక్రవారం సాయంత్రం నేను కాగితాలు లాక్కుని, "ఇది వేరే పాట" అన్నాను. అది స్వరాలు చదవగలదు. అయిదేళ్ళుగా పియానో నేర్చుకుంటోంది. నా ముఖం వైపు చూసి వెళ్ళిపోయింది. భోజనం దగ్గర చెల్లెలితో మెల్లగా, "మమ్మీకి కూడా మర్చిపోవడం స్టార్ట్ అయిందేమో" అంది. వెక్కిరింపు కాదు. భయపడుతూ అంది.

నేను ఆవిడకి ఇచ్చినదే నా పిల్లకి ఇస్తున్నాను. కళ్ళతో చూసినదాన్ని చూడలేదనుకోమంటున్నాను.

ఇవాళ ఉదయం ఇద్దరినీ కూచోబెట్టి, ఆ కాగితాలు బల్ల మీద పెట్టాను. పొయ్యి మీద ఏమీ పెట్టలేదు.

"నిన్న నువ్వు చదివింది కరెక్టే. మేడమ్ పోగొట్టుకోలేదు. ఆవిడ సరైనదే ఇచ్చింది. నేను మార్చాను, కావాలని. తర్వాత ఆవిడే మర్చిపోయిందని అబద్ధం చెప్పాను."

చిన్నది పెద్దదాని ముఖం చూసింది. పెద్దది, ఎందుకు అని అడిగింది. చెప్పాను. హాలు, చిన్నది ఏడవడం, పాల మాట, అందరూ నవ్వడం.

"నేను కూడా నవ్వానా?"

నువ్వు చిన్నదానివి, నీకేం తెలుసు అనబోయాను. నోటిదాకా వచ్చింది.

"నవ్వావు" అన్నాను. "నాకు అది కూడా కోపమే. ఇన్నాళ్ళూ ఉంది. నీ తప్పేం లేదు, అయినా ఉంది."

అది ఏడవలేదు. కాగితాలు తన వైపు లాక్కుని, ఎర్ర గీతల మీద వేలు పెట్టి, రేపు ఈ శ్రుతిలోనే పాడతానంది. ఆవిడకి చెప్తావా అనడిగింది.

"చెప్తాను. ఆవిడ నన్ను మళ్ళీ రావద్దు అనచ్చు. అర్థం కాకపోవచ్చు కూడా. లేకపోతే విని, పదినిమిషాల్లో మర్చిపోయి, మళ్ళీ తప్పు తనదే అని ఆ కథే చెప్పచ్చు. అప్పుడు మళ్ళీ చెప్తాను. ఎన్నిసార్లయినా. నేను చెప్పకపోతే మీరు చెప్పండి."