పై అంతస్తుకు తామరపూలు

అంగ్‌కోర్ గుడి చూపించే సియెమ్ రీప్ గైడుల్లో సారీన్ చేతి సేమ్యా తినని వాడు ఉంటే వాడికి లైసెన్సు ఎవరిచ్చారో కనుక్కోవాలి. కూలెన్ కొండ కింద, కోహ్ కెర్ వెళ్లే దారిలో ఉంది త్రపాంగ్ స్వాయ్ ఊరు. అక్కడ రోడ్డు పక్కన తాటాకు పందిరి కింద బియ్యప్పిండి సేమ్యా మీద నిమ్మగడ్డి వేసిన చేపల పులుసు పోసి, పైన అరటిపువ్వు తరిగి చల్లి ఇచ్చేది సారీన్. విదేశీయులు ఫొటోలు తీసుకునేవారు. గైడులు మాత్రం మారుమాట్లాడకుండా తినేవారు. వాళ్లకి అడక్కుండానే రెండో గరిటె పులుసు పడేది, దాంతోపాటు నాలుగు చీవాట్లు కూడా పడేవి.

"ఏరా, వాళ్లని ఎండలో నిలబెట్టి నువ్వు నీడలో కథలు చెబుతావంటగా? తిను, తిని సిగ్గు తెచ్చుకో."

రోడ్డుకు అవతలి పక్క పందిరి పోవ్‌ది. అదీ సేమ్యా పందిరే. ఒకప్పుడు ఇద్దరిదీ ఒకే రోలు. ఉడికిన పిండి ముద్దను దంచడానికి ఊళ్లో కాలి రోకలి ఉండేది. పొడుగాటి దూలం ఒక చివర కాలితో తొక్కితే రెండో చివర రోకలి లేస్తుంది, వదిలితే రోట్లో పడుతుంది. సారీన్ తొక్కేది. పోవ్ రోటి దగ్గర కూర్చుని, రోకలి లేచినప్పుడల్లా చెయ్యి పెట్టి ముద్దను తిప్పేది. చెయ్యి బయటికి తీశాక "వెయ్యి" అనేది, మళ్లీ "తొక్కు" అనేది. ఆ పిలుపు వినకుండా సారీన్ ఏనాడూ కాలు వదల్లేదు, పోవ్ వేళ్లు అన్నీ ఇప్పటికీ ఉన్నాయి. తర్వాత పెళ్లిళ్లయ్యాయి, పులుసులో బెల్లం వెయ్యాలా వద్దా అన్న దగ్గర మాటా మాటా పెరిగింది. రోడ్డుకి చెరో పక్కా చేరారు. అప్పట్నుంచి ఒకరినొకరు తిట్టుకోకుండా పొద్దు గడవలేదు, ఒకరి పందిరి మూసి ఉంటే రెండోవారికి అన్నం సయించలేదు.

సారీన్‌కి ఒక బాకీ ఉంది. డబ్బు బాకీ కాదు, దేవుడి బాకీ. అందరూ నల్లబట్టలు కట్టుకుని కాలవలు తవ్విన ఆ పాడుకాలంలో, పదిహేనేళ్ల సారీన్ జ్వరంతో కట్టెలా పడి ఉంటే, వాళ్లమ్మ చెవి దగ్గర నోరు పెట్టి మొక్కుకుంది. మొక్కుకోవడం కూడా నేరమే అప్పుడు. "నువ్వు బతికితే అంగ్‌కోర్ గుడి పై అంతస్తు బుద్ధుడికి తామరపూలు. నా చేత్తో కాదే, నీ చేత్తో." పిల్ల బతికింది. అమ్మ ఆ ఏడు దాటలేదు.

మరి ఇన్నేళ్లూ ఎందుకు వెళ్లలేదంటే, దగ్గర్లో ఉన్న దేవుడికి రేపు అనే మాట బాగా అలవాటు. మొదట యుద్ధం, తర్వాత పిల్లలు, ఆ తర్వాత పందిరి. అన్నీ తీరేసరికి రోకలి తొక్కీ తొక్కీ కుడి మోకాలు అరిగిపోయింది. పై అంతస్తు మెట్లు గోడకు నిచ్చెన వేసినట్టుంటాయి. పోవ్ ఏటా దెప్పేది: "గుడి కింద పుట్టి గుడెక్కనిదానివి నువ్వొక్కదానివేనే ఈ దేశంలో."

ఈ ఏడు సారీన్ ఒక నిర్ణయానికి వచ్చింది. వర్షాకాల వ్రతం మొదలయ్యే రోజున తల గొరిగించుకుని, తెల్లబట్టలు కట్టుకుని, ఊరి విహారంలో చేరిపోతుంది. చేరాక మూడు నెలలు గడప దాటడం ఉండదు, ఆ తర్వాత మోకాలు మాట వింటుందన్న ఆశా లేదు. మొక్కు తీరకుండా తల గొరిగించుకోవడం ఆమెకు అసలు మింగుడు పడలేదు. అమ్మ మాటను ఇంట్లో వదిలేసి తాను పుణ్యానికి పోయినట్టుంటుంది.

సరిగ్గా అప్పుడే ఆమె చెల్లెలి మనవరాలు కన్నికకి గైడు లైసెన్సు వచ్చింది. ఊరి ముసలమ్మలంతా కలిసి చిన్న బస్సు మాట్లాడారు. మూడు రోజుల యాత్ర, అచ్చం విదేశీయుల్లాగా.

"జెండా పట్టుకోవాలి మరి," అంది పోవ్. "జెండా లేకపోతే నేను రాను."

"మీరు అయిదుగురే కదా మామ్మా, తప్పిపోరులే."

"తప్పిపోతామని కాదే పిల్లా, దర్జా కోసం."

కన్నిక జెండా పట్టుకుంది. మొదటి రోజు బంతెయ్ స్రెయ్‌లో ఎర్రరాతి మీద వాలి సుగ్రీవులు కొట్టుకుంటున్న శిల్పం దగ్గర ఆగి, గొంతు సవరించుకుని, పరీక్షకు చదివినదంతా అప్పజెప్పబోయింది.

"ఇందులో చెప్పేదేముందే," అంది పోవ్. "ఆ వాలిని నేను, ఈ సుగ్రీవుడు మీ మామ్మ."

"మరి రాముడు?" అంది సారీన్.

"రాముడొస్తే చచ్చేది నేనేగా. రావద్దను."

నవ్వి నవ్వి ఒకరికి ఎక్కిళ్లు వచ్చాయి. కన్నిక తన మొదటి బృందాన్ని చూసుకుని, చదువు వదిలేసి తానూ నవ్వింది.

అంగ్‌కోర్‌ను ఆఖరి రోజుకు పెట్టించింది సారీనే. ఆ రోజు పున్నమి. పున్నమి శీలదినం కదా, ఎనిమిది నియమాలు పట్టి, పొద్దు తిరిగాక మెతుకు ముట్టకుండా, పుణ్యం రెట్టింపయ్యే రోజున మెట్లెక్కాలని ఆమె పంతం. ముసలమ్మలంతా తలూపారు. కన్నికకి మాత్రం "ఆఖరి రోజు" అని చెప్పి ఊరుకున్నారు. పున్నమి సంగతి పిల్లకి తెలియదా అనుకున్నారు. ఈ కాలం పిల్లలు చంద్రుణ్ణి చూసేది ఫోనులోనే అని వాళ్లకెవరు చెప్పాలి?

రెండో రోజు కోహ్ కెర్ చేరారు. అడవి మధ్య ఏడంతస్తుల రాతి మేరువు, కొండలా కట్టిన గుడి. పోవ్ యాత్రకు వచ్చిందే దీనికోసం. ఆమె మొగుడు కుర్రతనంలో సిపాయిగా దీని కింద కాపలా కాశాడు. పై నుంచి చూస్తే అడవి సముద్రంలా ఉంటుందని పోయేదాకా చెబుతూనే ఉన్నాడు. ముందు అన్నాలు కానిచ్చి ఎక్కుదామని పక్కనున్న విహారంలో చాప పరిచారు.

అక్కడ మామిడి చెట్టు కింద భిక్షువులు వరసగా కూర్చుని ఒకరి తల ఒకరు గొరుక్కుంటున్నారు.

"ఇవాళ క్షవరం రోజు," అంది పోవ్, ఎండుచేప నములుతూ. "సారీనూ, నీదీ ఇక్కడే కానిచ్చెయ్యవే. రేపు శీలదినం, ఎల్లుండి ఎలాగూ గుండే."

కన్నిక చేతిలో అన్నం ముద్ద ఆగిపోయింది.

"రేపు శీలదినమా?"

"కాకపోతే? పున్నమని తెలీదూ?"

పిల్ల ముఖం పాలిపోయింది. "మామ్మా... శీలదినాల్లో పై అంతస్తు మూసేస్తారు. ఎవర్నీ ఎక్కనివ్వరు. రేపంతా మూసే ఉంటుంది."

పుణ్యం కోసం వెతికి వెతికి పట్టుకున్న రోజు, తలుపు మూసిన రోజయింది. సారీన్ చెయ్యి కడుక్కుంది. అదేమిటో, ఆమెకు ఏడుపు రాలేదు, మోకాలు నొప్పెట్టింది.

"పోనీలే," అంది మెల్లగా. "అమ్మ అర్థం చేసుకుంటుంది."

"మీ అమ్మ అర్థం చేసుకుంటుందేమో, నేను చేసుకోను," అంది పోవ్. లేచి బట్టలు దులుపుకుంది. "పిల్లా, ఇవాళ ఎప్పటిదాకా తెరిచి ఉంటుంది?"

"సాయంత్రం మూసేస్తారు. ఇప్పుడు బయల్దేరితే... వాన లేకపోతే... అందుకోవచ్చు. కానీ పోవ్ మామ్మా, మీ మేరువు?"

పోవ్ తల తిప్పి ఆ రాళ్లను ఒక్కసారి చూసింది. కింద మొగుడు కాపలా కాసిన చోటేదో వెతికినట్టుంది ఆ చూపు.

"వెయ్యేళ్ల నుంచి ఉంది. వచ్చే నెలకి ఎక్కడికీ పోదు. ఈ సారీనైతే ఎల్లుండికి విహారంలో ఉంటుంది. లేవండే, సద్దండి! ఓరి డ్రైవరూ, ఆ పడుకోవడం తర్వాత!"

వాన పడింది, పడకుండా ఉంటుందా. ఎర్రమట్టి బురదలో బస్సు ఒకచోట జారి, ఇంకోచోట గేదెల వెనక ఆగింది. పోవ్ కిటికీలోంచి తల బయటికి పెట్టి గేదెల్ని, గేదెలవాణ్ణి, వాడి పూర్వీకుల్ని తిట్టింది. త్రపాంగ్ స్వాయ్ దాటుతున్నప్పుడు మూసి ఉన్న రెండు పందిళ్లనూ ఎవరూ చూడలేదు. సారీన్ చేతులు జోడించుకుని కళ్లు మూసుకుంది. దారి పొడుగునా ఒకటే మాట అనుకుంది: తెరిచి ఉండాలి.

గుడి ముందు దిగేసరికి వాన వెలిసింది. కందకం పక్కన అమ్ముతున్న తామరమొగ్గల్ని పోవ్ బేరమాడకుండా కొన్నది. అది ఆమె జీవితంలో మొదటిసారి. పొడుగాటి రాతిబాట మీద సారీన్‌ను ఇద్దరు ముసలమ్మలు చెరో రెక్కా పట్టుకుని నడిపిస్తున్నారు, పోవ్ నడుస్తూనే తామర రేకుల్ని పూజకు ఒక్కొక్కటే లోపలికి మడుస్తోంది. ముందు కన్నిక, తడిసిన జెండా.

మెట్ల దగ్గర వరస చూశాక అందరి కాళ్లూ ఆగిపోయాయి. లోపలి ముంగిలి చుట్టూ జనం. కాపలాదారు తాడు చేత్తో పట్టుకుని చెబుతున్నాడు: "కాసేపట్లో ఆపేస్తాం. వెనకున్నవాళ్లు ఆశ పెట్టుకోకండి." పున్నమికి మూస్తారని దేశంలో తక్కినవాళ్లందరికీ తెలిసినట్టుంది, అంతా ఇవాళే వచ్చారు.

కన్నిక కళ్లనిండా నీళ్లతో వెనక్కి తిరిగింది. అప్పుడే వరస మధ్యనుంచి ఒక లేతపసుపు చొక్కా కేక వేసింది.

"ఎవరది? మా సేమ్యా పిన్ని కాదూ!"

సొవాత్, బొజ్జ గైడు. వెనకాలే ఇంకో పసుపు చొక్కా, ముందర మరొకటి. ఆ వరసలో ఉన్న ప్రతి జెండా కింద సారీన్ పులుసు తిన్నవాడే ఉన్నాడు.

"ఇక్కడేం చేస్తున్నావు పిన్నీ? పులుసు ఎవరు కాస్తున్నారు?"

"మా అమ్మ మొక్కురా, తీర్చాలి," అంది సారీన్. "రేపు మూసేస్తారట."

సొవాత్ వెనక్కి తిరిగాడు. తన వెంట ఉన్న ఫ్రెంచివాళ్లతో వాళ్ల భాషలో ఏదో చెప్పాడు. వాళ్లు పక్కకు జరిగారు. ముందరి గైడు జపాను భాషలో చెప్పాడు, ఆ ముందరివాడు చైనా భాషలో. గొడుగులు, టోపీలు, కెమెరాలు ఒక్కొక్కటే పక్కకు తప్పుకుంటూ మెట్లదాకా దారి పడింది.

"ఏం చెప్పావురా వాళ్లకి?" అంది సారీన్.

"జీవితమంతా నాకు రెండో గరిటె వేసిందని చెప్పాను. నడువు."

మెట్ల కింద నిలబడి సారీన్ పైకి చూసింది. కట్టెతో వేసిన మెట్లే, పట్టుకోవడానికి కమ్మీ ఉంది, అయినా పైన ఆకాశం తప్ప ఏమీ కనబడలేదు. మొదటి మెట్టు ఎక్కింది. రెండోది ఎక్కింది. కొంచెం పైకి వెళ్లాక మోకాలు గట్టిగా మొరాయించింది. కాలు గాల్లో ఆగిపోయింది, ముందుకూ రాలేదు, వెనక్కీ రాలేదు. ఒళ్లంతా చెమట పట్టింది.

అప్పుడు కింద నుంచి వినబడింది.

"తొక్కు!"

పోవ్. రెండు చేతులూ నోటి దగ్గర పెట్టుకుని అరుస్తోంది.

"తొక్కవే! ముద్ద తిప్పాలి, తొక్కు!"

ఆ గొంతు వింటే సారీన్ కాలు ఏనాడూ ఆగలేదు. ఇప్పుడూ ఆగలేదు. ఎడమ కాలు మెట్టు మీద పడింది, ఒళ్లు బరువంతా దాని మీదికి వచ్చింది. "వెయ్యి!" కుడి కాలు దాని పక్కకు చేరింది. "తొక్కు!" మళ్లీ ఎడమ. కాపలాదారు "గుళ్లో అరవకూడదమ్మా" అన్నాడు. "నువ్వు నోర్ముయ్యి నాయనా," అంది పోవ్, "తొక్కు!" ముసలమ్మలు అందుకున్నారు. సొవాత్ అందుకున్నాడు. అర్థం తెలియని ఫ్రెంచివాళ్లు కూడా అందుకున్నారు. గడ్డు మెట్లన్నీ రోకలి దూలంలా ఆ కాలి కింద ఒక్కొక్కటే అణిగిపోయాయి.

పైన గాలి చల్లగా ఉంది. నడి గోపురం కింద బుద్ధుడు ఎదురుచూస్తున్నట్టే నిలబడి ఉన్నాడు. సారీన్ మోకరిల్లలేక చతికిలబడింది. తామరపూలు పాదాల దగ్గర పెట్టింది. ఇన్నేళ్లూ మనసులో దాచుకున్న పెద్ద పెద్ద మాటలేవీ రాలేదు. "అమ్మా, నా చేత్తోనే," అంది. అంతే. ఆపైన ఏడ్చింది, హాయిగా, ఎవరు చూసినా లెక్క లేకుండా.

కళ్లు తుడుచుకుని అంచుకు వచ్చి కమ్మీ పట్టుకుని నిలబడింది. గోపురాల అవతల కందకం, కందకం అవతల అడవి, కంటికి ఆనినంత మేరా పచ్చటి అడవి. సముద్రంలా ఉంది. ఆ మాట ఎవరు అనేవారో ఆమెకు గుర్తొచ్చింది.

కింద కాపలాదారు తాడు కట్టబోతున్నాడు. పోవ్ మెట్ల పక్కన ఒక రాతి మీద కూర్చుని, అరిచి అరిచి పోయిన గొంతు సవరించుకుంటోంది.

"పోవ్!" సారీన్ అరిచింది. "ఏమే పోవ్! మీ ఆయన చెప్పిన అడవి ఇక్కడుందే! రా!"

"ఇప్పుడా? నా మోకాళ్లు మాత్రం ఇనుమా?"

"కన్నికా, దాని చెయ్యి పట్టుకో. బాబూ, ఆ తాడు ఆపు, ఇంకొక్కరున్నారు!" సారీన్ రెండు చేతులూ నోటి దగ్గర పెట్టుకుంది. జీవితంలో ఎప్పుడూ పిలుపు వినడమే తప్ప పిలవడం ఎరగని మనిషి, ఊపిరి నిండా పీల్చుకుంది.

"తొక్కు!"