పచ్చ పార్టీలో నా వంతు

1979 మార్చి 31, శనివారం, సాయంత్రం నాలుగు గంటల పదిహేను నిమిషాలు. ఇంత కచ్చితంగా చెప్పగలుగుతున్నానంటే నా జ్ఞాపకశక్తి గొప్పదని కాదు. ఆ తేదీ, ఆ వేళ నా చేత్తో నేనే రాశాను. అప్పటికి నాకు నలభై రెండేళ్ళు. అంతకు ముందు నేను కాగితం మీద పెట్టినవన్నీ వేలిముద్రలే.

రాసింది మా ఊరి పచ్చ పార్టీ మీటింగుల పుస్తకంలో. పచ్చ అంటే ఇక్కడ ఆకుపచ్చ, చెట్టూ చేమా రంగు. బెజవాడ నుంచి బందరు కాలువ వెంబడి బస్సులో గంట ప్రయాణం చేస్తే వచ్చే ఊరికి అలాంటి పార్టీ ఏమిటని మీకు అనిపించవచ్చు. మాకూ అనిపించింది.

పెట్టింది మా పెద్దరైతు గారి అల్లుడు. బెజవాడ కాలేజీలో పాఠాలు చెప్పేవాడు, కాపురం భవానీపురంలో. శనివారం మధ్యాహ్నానికి అత్తగారింటికి దిగేవాడు. ఊరంతా ఆయన్ని మాస్టారు అనేది. లోకంలో కొత్తరకం పార్టీలు పుడుతున్నాయని ఆయన ఏదో ఇంగ్లీషు పత్రికలో చదివాడు. న్యూజీలాండులో ఒకటి పుట్టిందట. ఇంగ్లండులో ఇంకొకటి. జర్మనీలో అణు కరెంటు మాకొద్దని జనం పోయి పొలాల్లో కూర్చున్నారట, అక్కడ కూడా నేడో రేపో పుడుతుందట. ఆ పార్టీలు ఎర్రజెండా వాళ్ళతో ఉండవు, షావుకార్లతోనూ ఉండవు. భూమికి ఒక హద్దు ఉంది, ఆ హద్దు దాటి మనిషి ఎదగకూడదు అంటాయి. నేలకీ నీళ్ళకీ ఓటు లేదు కాబట్టి వాటి తరఫున ఎవరో ఒకరు నిలబడాలి అంటాయి. పెద్ద నాయకుడు ఉండకూడదు, అధ్యక్ష పదవి వంతుల ప్రకారం తిరగాలి. ఎక్కువమంది చేతులెత్తితే చాలదు, అందరూ ఒప్పుకోవాలి. నిర్ణయాలు కింది నుంచి రావాలి.

కింద మేము ఎప్పటినుంచో ఉన్నాం. అడగడానికి ఎవరైనా రావడం మాత్రం అదే మొదలు.

సభ్యులు పెద్దరైతు గారితో కలిపి తొమ్మిది మంది, మీటింగులు ఆయన ఇంటి అరుగు మీద. ఒక ఆడమనిషి ఉండాలి, మా క్రైస్తవుల పేట నుంచి ఒక మనిషి ఉండాలి అని పత్రికలో పద్ధతి ఉందట. రెండింటికీ కలిపి నన్ను తీసుకున్నారు. ఆ విధంగా పార్టీకి ఒక కుర్చీ ఖర్చు తగ్గింది. నిజానికి రెండు తగ్గాయి, నేను అరుగు మెట్టు మీద కూర్చునేదాన్ని. మీటింగులో మాస్టారు నన్ను 'మీరు' అనేవాడు. మీటింగు అయ్యాక వాళ్ళ దొడ్లో పేడ ఎత్తుతుంటే 'నువ్వు' అనేవాడు. ఆయన తప్పేమీ లేదు. పత్రికలో మీటింగు గురించే రాసి ఉంటారు.

వంతుల పద్ధతి మాత్రం ఎవరికీ వివరించనక్కరలేకపోయింది. కాలువలో నీళ్ళు తగ్గినప్పుడు ఈ పూట ఎగువ పొలాలకి, ఆ పూట దిగువ పొలాలకి అని వంతులు వేస్తారు. గట్టు మీద పారతో కాపలా కూర్చున్నవాళ్ళం మేము. వంతు వచ్చినప్పుడు కునుకు తీస్తే అది మళ్ళీ రాదు.

ఫిబ్రవరి మొదటి శనివారం మాస్టారి వంతు. అణుబాంబులు సముద్రంలో పేల్చకూడదని తీర్మానం చేశాం, అందరూ సరే అన్నారు. తర్వాతి వారం తిమింగలాలను చంపకూడదన్నాం. నేను తిమింగలాన్ని చూడలేదు, అయినా దాని మీద నాకు కోపం ఏమీ లేదు గనక సరే అన్నాను. జర్మనీ నదుల్లో ఫ్యాక్టరీ నీళ్ళు వదలకూడదన్నాం. అదీ అందరూ సరే అన్నదే. ఆ నీళ్ళు వదిలేవాళ్ళలో ఎవరూ మా అరుగు మీద లేరు.

నాలుగో వారం నేను మా చెరువు సంగతి ఎత్తాను.

ఏటా ఎండాకాలం రిపేర్లకని కాలువ కట్టేస్తారు. కట్టే ముందు ఊళ్ళవాళ్ళు తాగే చెరువులు నింపుకోవాలి. జూన్‌లో మళ్ళీ నీళ్ళు వదిలేదాకా ఆ నీళ్ళే గతి. ఊరి చెరువుకి కాలువ నుంచి నేరుగా తూము ఉంది. మా పేట చెరువుకి నీళ్ళు పెద్దరైతు గారి పొలం పక్కన పారే పిల్లకాలువ, బోదెలోంచి రావాలి. ఆ బోదెలో ఆయన మందు కొట్టే పంపులు కడిగించేవాడు. ఆ ఏడు రెండో పంటకి దోమ పట్టింది, ఎండ్రిను అనే పురుగుమందు తెగ కొట్టారు. బోదెలో చేపపిల్లలు తెల్లగా తేలాయి. ఆ బోదె నీళ్ళతో చెరువు నిండితే రెండు నెలలు పిల్లలతో సహా మేం తాగాల్సింది అదే.

ఆ పంపులు కడిగేది ఎవరో కూడా చెప్పాలి. నా మొగుడు. పెద్దరైతు గారి దగ్గర పాలేరు.

"నీ చేత్తో నువ్వే కలుపుతున్నావు గదయ్యా" అంటే, "కడగమన్న కాడ కడుగుతా. జీతం నాకు నువ్విస్తావా?" అనేవాడు.

మీటింగులో నేను ఆ సంగతి ఎత్తగానే పెద్దరైతు గారు దగ్గారు. ఆ వారం అధ్యక్షుడు సొసైటీ గుమాస్తా. ఆయన 'వాయిదా' అని రాశాడు. తర్వాతి వారం కాంపౌండరు అధ్యక్షుడు, దగ్గు అదే, వాయిదా అదే. భూగోళాన్ని కాపాడటానికి మా పార్టీకి పావుగంట పట్టేది. బోదె దగ్గరికి వచ్చేసరికి అందరికీ గొంతులో ఏదో అడ్డం పడేది.

నా వంతు ఆఖరిది. అధ్యక్షత చేసినవాళ్ళు పుస్తకం రాయాలి.

"మీకు చదువు రాదు కదమ్మా, మీ వంతు నేను తీసుకుంటాలెండి" అన్నాడు మాస్టారు మర్యాదగానే.

"నా నీళ్ళ వంతు ఇంకోళ్ళు తీసుకుంటే నా చేను తడవదండి" అన్నాను.

ఆ రోజు నుంచే మా చర్చిలో సండే స్కూలు టీచరమ్మ దగ్గర పలక పట్టాను. ఆరేళ్ళ పిల్లల వెనక కూర్చుని నేర్చుకున్నాను. వాళ్ళు నన్ను చూసి నవ్వారు, నా అక్షరాలు చూసి ఇంకా నవ్వారు. మార్చి నెలాఖరుకి నడుము వంగిన అక్షరాలైనా అక్షరాలే అనిపించేటట్టు రాయగలిగాను.

ఆ శనివారం నేను మెట్టు మీంచి లేచి కుర్చీలో కూర్చోవాలి. అరుగు మీద కుర్చీలన్నీ హఠాత్తుగా నిండిపోయి ఉన్నాయి. రిటైరైన బడిపంతులు గారు లేచి తన కుర్చీ ఇచ్చి, గోడకి ఆనుకుని నిలబడ్డారు. తేదీ రాశాను, వేళ రాశాను. తర్వాత విషయం చదివాను: పేట చెరువు బోదెలో మందు పంపులు కడగకూడదు. కాలువ కట్టడానికి వారం ఉంది, మా చెరువుకి నీళ్ళు మంగళవారం వదులుతారు.

పెద్దరైతు గారు దగ్గారు.

"అయ్యగారూ, కాదంటున్నారాండీ?"

"కాదంటున్నాలే. తర్వాతది చూడు."

"తర్వాతది లేదండి. ఇయ్యాల ఇదొక్కటే. ఎందుకు కాదంటున్నారో చెబితే రాసుకుంటానండి."

కాదన్నవాడి కారణం పుస్తకంలో రాయాలనేది మాస్టారు పత్రికలోంచి తెచ్చిన నియమమే. అప్పటిదాకా ఎవరూ దాన్ని వాడలేదు.

"ఎందుకేంటే? ఆచరణసాధ్యం కాదని రాయి."

"ఆ మాట రేపు పేటలో చదివితే ఎవరికీ తెలవదండి. మామూలుగా చెప్పండి."

"పేటలో చదవడమేంటి?"

మాస్టారు మెల్లిగా అన్నాడు, "పుస్తకం ఎవరైనా చూడొచ్చని మనమే అనుకున్నాం మావయ్యగారూ." ఆ నియమం తెచ్చినందుకు ఆయన బాధపడుతున్నట్టు తెలుస్తూనే ఉంది.

"సరే రాసుకో. బోదె చేను పక్కనే ఉంది. మురుగు కాలువ దాకా పంపులు మోయిస్తే సగం పూట పోద్ది."

నేను రాయడం మొదలుపెట్టాను. పైకి చదువుకుంటూ రాయడం అప్పటికింకా మానలేదు. "బోదె... చేను... పక్కనే..." ఒక్కొక్క మాట ఆయన అరుగు మీద ఆయనకే వినపడుతోంది. కాంపౌండరు వాచీ చూసుకున్నాడు. గుమాస్తా తన చెప్పులు చూసుకున్నాడు.

"పూట ఎవరిదండి, మా ఆయనదా, మీదా?"

"నేను కూలిచ్చాక పూట నాదే."

"అట్టాగే రాస్తానండి."

రాశాను. బాగా సేపు పట్టింది.

"ఇంకొక్కటండి. ఆ నీళ్ళు తాగితే ఏమవుద్దని పేటలో అడుగుతారు. ఏం రాయమంటారు?"

"ఏమీ కాదు. ఇన్నాళ్ళూ ఏమైంది?"

"అయితే అయ్యగారు తాగుతారా అని అడుగుతారండి. తాగుతారని రాయనా, తాగరని రాయనా?"

ఆయన నా వంక చూడలేదు. అల్లుడి వంక చూశాడు. "అల్లుడుగారూ, మీ పార్టీ నా అరుగు మీద ఇంక చాలు" అని లోపలికి వెళ్ళి తలుపు వేసుకున్నాడు.

"ఇంకెవరన్నా కాదంటున్నారాండీ?" అన్నాను.

"మావయ్యగారు లేకుండా ఎలా..." అని మాస్టారు నసిగాడు.

గోడ దగ్గర నిలబడ్డ పంతులుగారు అన్నారు, "తిమింగలాల నాడు ఆయన చుట్ట కోసం లోపలికెళ్ళారు. అప్పుడు అందరూ ఒప్పుకున్నారనే రాశారు కదయ్యా."

తిమింగలాలకి ఉన్న సౌకర్యం మాకు లేదని పైకి అనడానికి ఎవరికీ నోరు రాలేదు. అందరూ ఒప్పుకున్నారని రాశాను.

ఇంటికి నడుస్తుంటే నా మొగుడు అడిగాడు, "నా పేరు గానీ రాశావా?"

"రాయలా. నీ పూట రాశా."

మర్నాడు ఆదివారం ఆరాధన అయ్యాక చర్చి ముందు పుస్తకం తెరిచి చదివాను. తడుముకుంటూ చదివాను, రెండుసార్లు చదివించారు. పంపులు మోసే నలుగురూ మా పేటవాళ్ళే, నలుగురూ విన్నారు. 'పూట నాదే' అన్న చోట ఒకడు నవ్వాడు, ముగ్గురు నవ్వలేదు.

సోమవారం పొద్దున పెద్దరైతు గారు బోదె దగ్గరే కడగమన్నారు. నా మొగుడు పంపు దించి గట్టు మీద పెట్టాడు. మిగతా ముగ్గురూ పెట్టారు. వాళ్ళేమీ నినాదాలు ఇవ్వలేదు, బీడీలు వెలిగించారు. చేలో దోమ సుడులు సుడులుగా పాకుతోంది, రెండు రోజులు మందు ఆగితే కొయ్యడానికి ఏమీ మిగలదు. ఆయన కాసేపు చేను వంక, కాసేపు వీళ్ళ వంక చూసి, "ఎక్కడ కడుక్కుంటారో కడుక్కు చావండి" అని వెళ్ళిపోయాడు. పంపులు మురుగు కాలువకి నడిచాయి. మంగళవారం మా చెరువు నిండింది. ఆ నీళ్ళు శుభ్రమైనవని నేను ప్రమాణం చేయను. పైన బెజవాడ మొత్తం ఉంది. మా మొగవాళ్ళు కడిగిన మందు మాత్రం వాటిలో లేదు.

పార్టీ అంతటితో సరి. భూమి మొత్తానికి పెట్టిన పార్టీని ఒక చెరువు దగ్గర కుదించేశారని మాస్టారు నొచ్చుకున్నాడు. కొన్నేళ్ళకి బస్టాండులో కనిపించి, జర్మనీలో ఆ పార్టీవాళ్ళు పార్లమెంటు దాకా వెళ్ళారని సంబరంగా చెప్పాడు. అక్కడ కూడా వంతు అయిపోయాక కుర్చీ దిగమంటే కొందరు దిగనన్నారట. ఆ ముక్క వినగానే ఆ దేశం మీద నాకు కాస్త చనువు కలిగింది.

ఆ శనివారం అరుగు దగ్గర ఉన్నవాళ్ళు: పార్టీ పెట్టిన మాస్టారు. మధ్యలో లేచిపోయిన ఆయన మామగారు. కుర్చీ ఇచ్చిన పంతులుగారు. సొసైటీ గుమాస్తా. కాంపౌండరు. తూము తలుపులు ఎత్తే కాలువ లస్కరు. రేడియోలు బాగుచేసే ఆయన. రేషను డీలరు. నేను. సభ్యుడు కాకపోయినా, పంపు భుజాన వేసుకుని మెట్ల కింద మొదటి నుంచీ నిలబడి ఉన్న నా మొగుడు.